మా మరిది బాకీపడ్డ దెబ్బ

2010 ఫిబ్రవరి 9, మంగళవారం. ఐదింటికి కుళాయి వస్తే రెండు డ్రమ్ములూ నింపాను. అత్తగారికి బీపీ మాత్ర ఇచ్చి టీ పెట్టాను. ఇడ్లీపిండి రుబ్బడం అయింది. కందిపప్పు బాగుచేసి డబ్బాలో పోశాను. ఆస్పత్రికి పంపడానికి జావ కాచి ఫ్లాస్కులో పోసి మూత బిగించాను. దుప్పట్లు నానబెట్టాను గానీ ఉతకలేదు. పదకొండు దాటాక ఆస్పత్రి నుంచి మా ఆయన ఫోను చేశారు. "జావ పంపొద్దు," అన్నారు. తర్వాత, "అమ్మకి నేనొచ్చి చెప్తాను, నువ్వు చెప్పకు," అన్నారు. మా మరిది పోయాడని నాకు అలా తెలిసింది.

పెద్దకర్మ అయిపోయింది. వచ్చినవాళ్ళంతా వెళ్ళారు. మన రైల్వే కాలనీ తెలుగువాళ్ళలో మా మరిది తెలియనివాళ్ళు లేరు గానీ, అందరికీ తెలిసింది రెండు ముక్కలే. స్టేషన్ రోడ్డులో తన్నులాటలకి పోయేవాడని ఒకటి, తర్వాత టీవీలో చూపించే కుస్తీలు పట్టాడని ఇంకొకటి. రెండో ముక్క తప్పు. టీవీలో వచ్చేది ముందే అనుకుని ఆడే ఆట. మా మరిది ఆడింది నిజం పోటీ. చుట్టూ ఇనప జాలీ కడతారు. లోపల ఇద్దరు, వాళ్ళతో ఒక రిఫరీ. గుద్దొచ్చు, తన్నొచ్చు, కిందపడేసి చెయ్యి మెలిపెట్టొచ్చు. మిక్స్‌డ్ మార్షల్ ఆర్ట్స్ అంటారు. అదే అతని ఉద్యోగం. మొదటి ముక్క మాత్రం నిజమే. దాని గురించే ఎక్కువ రాయాలి.

నేను కాపరానికి వచ్చేటప్పటికి అతను నాలుగో క్లాసు. స్కూలు నుంచి వస్తూనే చొక్కా విప్పి నాకిచ్చేవాడు. "ఇవాళ రెండు గుండీలే పోయేయి వదినా," అనేవాడు, అదేదో పొదుపు చేసినట్టు. మామగారు ఇంజను డ్రైవరు. డ్యూటీ మీద వెళ్తే రెండు రోజులకి గానీ క్వార్టరుకి వచ్చేవారు కాదు. ఆ రెండు రోజులూ ఇంట్లో ఇతన్ని పట్టేవాళ్ళు లేరు. పెద్దయ్యేకొద్దీ గుండీలు పోవడం మానేసి పళ్ళు పోవడం మొదలైంది, ఎక్కువగా అవతలివాళ్ళవి. కొట్టడానికి అతనికి సొంత పగ అక్కర్లేదు. స్నేహితుల దగ్గర అరువు తెచ్చుకున్న పగ చాలు.

2001లో అలాంటి పగే. స్టేషన్ బయట ఆటో స్టాండులో ఇతని స్నేహితుడొకడు సామాను కిరాయి దగ్గర ఒక ఆటో అతనితో మాటామాటా అనుకున్నాడు. ఆటో అతనిది ఊరి పక్కనున్న లింగియాడీహ్, ఛత్తీస్‌గఢీ మనిషి, పెళ్ళయి ఒక ఆడపిల్ల. మా మరిది టీ కొట్టు దగ్గర నుంచి లేచి వెళ్ళి, ఆటో అతన్ని కింద పడేసి కొట్టడం మొదలుపెట్టాడు. స్నేహితుడు సామాను తీసుకుని వేరే ఆటో ఎక్కి వెళ్ళిపోయాడు కూడా. ఇతను మాత్రం ఆపలేదు. నలుగురు పట్టుకుని లాగేటప్పటికి ఆటో అతని ఎడమ చెవిలోంచి రక్తం కారుతోంది. ఆ చెవి పోయింది. ఎడమ పక్క హారన్ వినపడనివాడు ఆటో ఎలా నడుపుతాడు? అమ్మేసి ఇంటి ముందు పంక్చర్ల కొట్టు పెట్టుకున్నాడు.

పోలీసు కేసు కాకముందే రాజీ కుదర్చాలని మా క్వార్టరు వరండాలో పెద్దలు కూర్చున్నారు. ఆస్పత్రి ఖర్చు మా ఆయన అప్పటికే కట్టారు. "ఇంకేం కావాలో చెప్పు బాబూ," అని ఒక పెద్దాయన హిందీలో అడిగారు.

"దెబ్బ కావాలి," అన్నాడు ఆటో అతను. "ఇతను చేతులు వెనక్కి పెట్టుకుని నిలబడాలి. నేను ఒక్కటి కొట్టాలి."

అందరూ మా ఆయన వైపు చూశారు. గుమ్మం లోపల నుంచి మా అత్తగారే అన్నారు: "కొట్టనీరా. ఆ పీడేదో ఇవాళ్టితో పోద్ది."

మా మరిది మెట్లు దిగి, చేతులు వెనక్కి కట్టుకుని నిలబడ్డాడు. అప్పట్లో అతని మొహం మీద ఎప్పుడూ ఒక వెకిలి నవ్వుండేది. ఆటో అతను దగ్గరకొచ్చి ఆ మొహం చూశాడు. చెయ్యి ఎత్తలేదు.

"నవ్వుతున్నాడు," అన్నాడు. "ఇవాళ కాదు. నాకెప్పుడు కావాలో అప్పుడు కొడతాను." కేసు పెట్టకుండా వెళ్ళిపోయాడు. ఆ రాజీని ఏమనాలో పెద్దలకి తెలియలేదు. టీ తాగి వాళ్ళూ లేచారు.

ఆ తర్వాత ఏడాదికి, రైల్వే ఇన్‌స్టిట్యూట్ హాల్లో జూడో నేర్పే మాస్టారు ఇతన్ని చేరదీశారు. ఎత్తి పడేయడం నేర్పుతారని ఇతను ఎగురుకుంటూ వెళ్ళాడు. ఆయన మొదట నేర్పింది ఓడిపోవడం. అవతలివాడి పట్టు భరించలేకపోతే అరచేత్తో నేల మీద టపటపా కొట్టాలి. అది వినపడిందంటే పట్టినవాడు తక్షణం వదిలేయాలి. వదలనివాడికి ఆ హాల్లో మర్నాడు చోటు లేదు. ఇంట్లో కూడా అదే అలవాటైంది. అన్నం చాలు అనడానికి కంచం పక్కన నేల మీద రెండుసార్లు కొట్టేవాడు. "ఏటిరా అది, బల్లిని తోలుతున్నావా?" అనేవారు అత్తగారు, ఇంకో గరిటె వేస్తూ. "అమ్మా, నీకు రూల్స్ తెలీవు. నిన్ను డిస్‌క్వాలిఫై చేసేత్తారు," అనేవాడు.

ఒక మధ్యాహ్నం అలాగే నేల మీద కొట్టాడు. నేను గరిటె వెనక్కి తీసుకున్నాను. అతను మాత్రం చెయ్యి అక్కడే ఉంచి దాన్నే చూస్తున్నాడు.

"ఏటైంది?" అన్నాను.

"ఆ ఆటో అతను వదినా," అన్నాడు. "నేను మీద కూచున్నప్పుడు రోడ్డు మీద ఇలాగే కొట్టేడు. చాలాసేపు కొట్టేడు. కొట్టుకోనీలే అనుకున్నాను."

అన్నం వదిలేసి లేచాడు. ఆ సాయంత్రమే లింగియాడీహ్ వెళ్ళాడు. పంక్చర్ల కొట్టు ముందు, ఆటో అతనికి వినపడే కుడి పక్కన నిలబడి, చేతులు వెనక్కి పెట్టుకుని, "ఇవాళా?" అని అడిగాడట. అతను ట్యూబు నీళ్ళలో ముంచుతూ, "ఇవాళ కాదు, పో," అన్నాడట. అప్పటినుంచి ఊళ్ళో ఉన్నప్పుడల్లా వెళ్ళేవాడు. అదే ప్రశ్న, అదే జవాబు. కొన్నేళ్ళకి మధ్యలో ఒక టీ చేరింది. మాట మాత్రం మారలేదు. "ఎందుకయ్యా, ఆయన మర్చిపోయినా నువ్వు గుర్తుచేస్తున్నావు," అన్నాను ఒకసారి. "చెవి ఆయనది వదినా. ఎలా మర్చిపోతాడు?" అన్నాడు.

2005లో ముంబయి వెళ్ళి పోటీల్లో దిగాడు. అక్కడా, గోవాలో, ఒకసారి థాయిలాండులో కూడా ఆడాడు. గెలిచినవీ ఉన్నాయి, ఓడినవీ ఉన్నాయి. డబ్బు తక్కువ, దెబ్బలు ఎక్కువ. మనిషి మాత్రం నెమ్మదించాడు. ఆ వెకిలి నవ్వు పోయింది. వీధిలో ఎవరైనా రెచ్చగొడితే, "అచ్ఛా భయ్యా, నువ్వే గెలిచావు," అని పక్కకి తప్పుకునేవాడు. లోపల భయం వేయదా అని అడిగాను. "జాలీ లోపల భయమేటి వదినా? అక్కడ ఆపడానికి ఒకడుంటాడు. రోడ్డు మీద ఎవడూ ఉండడు," అన్నాడు.

నాగ్‌పూర్‌లో ఒక పోటీకి మా ఇంటి నుంచే వెళ్ళాడు. అప్పుడు చూశాను వాళ్ళ కష్టం. ముందురోజు తూకంలో బరువు ఎక్కువుంటే ఆడనివ్వరట. రెండు స్వెట్టర్లు, మా ఆయన గార్డు డ్యూటీకి వేసుకునే కోటు తొడుక్కుని, నా వంటింట్లో బొగ్గుల పొయ్యి పక్కన కూర్చున్నాడు. నీళ్ళు పుక్కిలించి ఉమ్మేయడమే, మింగడం లేదు. పెదవులు తెల్లగా ఎండిపోయాయి. అత్తగారు గుమ్మంలో కూర్చుని ఏడుపు. "తిండి తిననోడు ఎవర్ని కొడతాడే? నువ్వైనా చెప్పవే." మధ్యమధ్య స్టేషనుకి పోయి, రంగు లైట్లు తిరిగే బరువు మెషీను ఎక్కి వచ్చేవాడు. టికెట్టు వెనక జాతకం ఉంటుంది కదా, ఒకటి తెచ్చి చూపించాడు. "చూడు వదినా, నేను శాంతస్వభావుణ్ణట. బరువు తప్పు చూపించినా ఇది మాత్రం కరెక్టు." ఆ ఇంట్లో ఆ రోజు నవ్వింది అతనొక్కడే.

పోయిన నవంబరులో ముంబయి పోటీలో తలకి దెబ్బ తగిలి, లేవడానికి చాలాసేపు పట్టింది. స్కాను తీసిన డాక్టరు, లోపల రక్తం చిమ్మిందని, ఇంక పోటీలు లేవని చెప్పాడు. తలకి చిన్న దెబ్బ కూడా తగలకూడదన్నాడు. డిసెంబరులో ఇంటికి వచ్చేశాడు. ఎండలో కుర్చీ వేసుకుని కూర్చునేవాడు. అడిగిందే అడిగేవాడు. ఒకే చెప్పులో ఒకసారి కుడికాలు, ఒకసారి ఎడమకాలు పెట్టి చూసుకునేవాడు. ముప్పై మూడేళ్ళ మనిషిని, నేను చెయ్యి పట్టుకుని రోడ్డు దాటించేదాన్ని.

జనవరిలో ఒకరోజు లింగియాడీహ్ వెళ్తానన్నాడు. ఒంటరిగా పంపలేక నేనూ వెళ్ళాను. డాక్టరు మాట అక్కడ ఎత్తొద్దని దారిలో నా చేత ఒట్టు వేయించుకున్నాడు. కొట్టు ముందు ఎప్పటిలాగే కుడి పక్కన నిలబడ్డాడు. చేతులు వెనక్కి పెట్టుకున్నాడు.

"ఇవాళా?"

ఆటో అతను చేతిలో సైకిలు చక్రం కింద పెట్టాడు. చేతులు గుడ్డకి తుడుచుకున్నాడు. "ఇవాళే," అన్నాడు.

మా మరిది తల ఊపాడు.

"నిన్న బజారులో మా అమ్మాయి వెనకనుంచి పిలిచింది," అన్నాడు అతను. "ఎడమ పక్కనుంచి పిలిచింది. నాకు వినపడలేదు. ముందుకెళ్ళిపోయాను. తిరిగొచ్చి చూస్తే నడిరోడ్డులో ఏడుస్తూ నిలబడి ఉంది. రాత్రంతా నీ మొహమే కనపడింది నాకు."

"కొట్టండి," అన్నాడు మా మరిది. కళ్ళు మూసుకున్నాడు. మొహం మీద నవ్వు లేదు.

అతను చెయ్యి ఎత్తాడు. పంక్చర్లు వేసే చెయ్యి, బలమైనది. నేను ఒట్టు లెక్కచేయలేదు. "తలకి దెబ్బ తగలకూడదని డాక్టరు చెప్పాడు భయ్యా. తగిలితే మనిషి దక్కడు," అన్నాను.

చెయ్యి అలాగే కాసేపు గాలిలో ఉంది. తర్వాత దించాడు. మా మరిదిని పైనుంచి కింద దాకా చూశాడు, కొత్తగా చూసినట్టు. కాళ్ళకున్న చెప్పులు చూశాడు, కుడీ ఎడమా తారుమారై ఉన్నాయి.

"చెవి తీసుకున్నావు," అన్నాడు. "నాకు మిగిలింది ఈ ఒక్క దెబ్బ. ఇప్పుడు అదీ లేకుండా చేశావు." చక్రం తీసుకుని లోపలికి వెళ్ళిపోయాడు. ఆ రోజు టీ లేదు.

తిరిగొచ్చేటప్పుడు ఆటోలో మా మరిది నా వైపు చూడలేదు. ఇల్లు వచ్చేముందు మాత్రం, "నువ్వు చెప్పకపోతే ఇవాళ తీరిపోయేది వదినా," అన్నాడు.

"నువ్వూ పోయేవాడివి."

"అది ఎలాగూ పోతాను కదా," అన్నాడు, మామూలుగానే.

ఫిబ్రవరి మొదటి ఆదివారం వాంతులు మొదలయ్యాయి. ఆస్పత్రిలో చేర్చాం. మంగళవారం సంగతి పైన రాశాను.

సాయంత్రం శవం లేచింది. మన ఆడవాళ్ళం గేటు దగ్గరే ఆగిపోతాం కనుక, అక్కడి నుంచి జరిగింది మా ఆయన చెప్పిందే రాస్తున్నాను. అర్పా నది దారిలో దింపుడు కళ్ళం దగ్గర పాడె దించారు. మా ఆయన వంగి తమ్ముడి చెవిలో మూడుసార్లు పేరు పెట్టి పిలిచారు. జనంలో ఆఖరున పంక్చర్ల కొట్టు అతను ఉన్నాడని అప్పుడే చూశారట. అతను ముందుకొచ్చి ఏం చేస్తున్నారని అడిగాడు.

"మా వాళ్ళలో ఇది ఆచారం," అన్నారు మా ఆయన. "ప్రాణం ఏమైనా ఉంటే లేస్తాడని, దగ్గరివాళ్ళు పిలుస్తారు."

"నేను పిలవొచ్చా?"

బంధువుల్లో ఒకరు అడ్డు చెప్పబోతే మా ఆయన ఆపారు. అతను చెప్పులు విడిచి, మట్టిలో మోకాళ్ళ మీద కూర్చుని, మా మరిది చెవి దగ్గరికి వంగాడు. "లే," అన్నాడట, హిందీలోనే. "ఇవాళే. లే, ఇవాళ కొడతాను." మళ్ళీ అన్నాడు. మూడోసారీ అన్నాడు. అక్కడితో లేవలేదు. తల తిప్పి, తనకి వినపడే చెవిని మా మరిది నోటి దగ్గర పెట్టి, అలాగే ఉండిపోయాడు. మోసేవాళ్ళు నిలబడ్డారు. పొద్దు వాలుతోంది, అయినా ఎవరూ తొందరపెట్టలేదట.

చివరికి లేచి మోకాళ్ళ మట్టి దులుపుకున్నాడు. "హిసాబ్ బరాబర్, భయ్యా," అన్నాడు మా ఆయనతో. లెక్క చెల్లిందని అతనే అన్నాడు కనుక, చెల్లినట్టే రాస్తున్నాను.