తువ్వాల కింద బేస్‌బాల్

ఆ రోజుల్లో మా జమ్మలమడుగులో మగపిల్లవాడు ఏ రంగు చొక్కా వేసుకున్నాడు, ఏ టీ అంగడి దగ్గర నిలబడ్డాడు, ఎవరి మోటారు సైకిల్ వెనక కూర్చున్నాడు అన్నదాన్ని బట్టి అతనిది ఏ పార్టీయో ఊరే తేల్చేసేది. అతన్ని అడగాల్సిన పని ఉండేది కాదు. ఆడపిల్లలకు ఆ బాధ లేదు. మమ్మల్ని ఏ పార్టీవాళ్ళూ లెక్కలోకి తీసుకునేవాళ్ళు కారు కాబట్టి మేం ఏ వీధిలోనైనా నడవొచ్చు, ఏ అంగట్లోనైనా బేరమాడొచ్చు. (ఇదొక్కటి తప్ప మాకు వేరే స్వేచ్ఛ ఏదీ ఉండేది కాదు, అది వేరే సంగతి.) ఆ కాస్త స్వేచ్ఛనూ నేను ఒక ఎండాకాలమంతా వీడియో గేము కాసెట్టు ఒకటి కొనడానికి వాడాను. అది బేస్‌బాల్ ఆట. బేస్‌బాల్ అంటే ఏమిటో అప్పటికి మా వీధిలో ఒక్కరికీ తెలియదు. నిజం చెప్పాలంటే నాకు ఇప్పటికీ సగమే తెలుసు.

దీనికంతటికీ కారణం మా అన్న. డిగ్రీ చదువుతున్నాడని మా నాయన నమ్మకం. చదువు సంగతి దేవుడికెరుక గానీ పెన్నేటి ఇసుకలో క్రికెట్ ఆడడంలో మాత్రం అన్నను మించినవాడు లేడు. వాళ్ళ జట్టుకు బ్యాట్లు, ప్యాడ్లు, టోపీలు ఒక పార్టీ నాయకుడు కొనిచ్చాడు. ఊరికే ఇస్తాడా, టోపీల మీద పార్టీ గుర్తు అచ్చు వేయించి మరీ ఇచ్చాడు. మా అన్నకు అది ఎండకు పెట్టుకునే టోపీ. అవతలి పార్టీవాళ్ళకు మాత్రం అది పెట్టుకున్నవాడు ఆ నాయకుడి మనిషి. ఎలక్షన్లు దగ్గరపడ్డాక ఒక సాయంత్రం ఎల్బీడబ్ల్యూ దగ్గర మొదలైన తగాదా వికెట్లు పెరుక్కుని కొట్టుకునేదాకా పోయింది. మా అన్న పక్కన నిలబడ్డ పిల్లవాడి తల పగిలి కుట్లు పడ్డాయి. మా నాయన బడిలో హెడ్మాస్టరు, గొంతు పెంచి ఎరగడు. ఆ రాత్రి టోపీని తన చేత్తోనే పొయ్యిలో పెట్టి, ఓట్లు లెక్కపెట్టేదాకా గడప దాటొద్దని అన్నకు నెమ్మదిగా చెప్పాడు. ఆయన అరిచి ఉంటే మాకు అంత భయం వేసేది కాదు.

మొదటి వారం అన్న నిద్రపోయాడు. రెండో వారం ఇంట్లో అటూ ఇటూ తిరిగాడు. ఆ తర్వాత సాయంత్రాలు ప్రహరీగోడ దగ్గర నిలబడి స్నేహితులతో గుసగుసలు మొదలుపెట్టాడు. మా గోడ ఎంత ఎత్తో నాకు తెలుసు, నేనే ఎన్నోసార్లు దూకాను. ఇవాళ కాకపోతే రేపు వీడూ దూకుతాడు. దూకితే ఈసారి పగిలేది ఎవరి తలో ఎవరు చెప్పగలరు? మా అమ్మ ఏడ్చింది, మా జేజి (నాయన తల్లి) ప్రార్థన చేసింది. నాకు ఏడుపూ సరిగా రాదు, ప్రార్థనలో నిద్రొస్తుంది. వాణ్ణి ఇంట్లో కూర్చోబెట్టే వస్తువేదో తేవాలని పట్టుబట్టాను. నాది ఉడుంపట్టు అని మా ఇంట్లో అందరూ ఒప్పుకుంటారు, మెచ్చుకుని కాకపోయినా.

మా చిన్నాయన కువైట్ నుంచి తెచ్చిన టీవీ గేము ఒకటి ఇంట్లో ఉండేది. దాంతో వచ్చిన కాసెట్టు మీద నూరు ఆటలని రాసి ఉంది గానీ, ఉన్నవి పది ఆటలే, పేర్లు మాత్రం నూరు. అవన్నీ అన్నకు ఎప్పుడో విసుగెత్తాయి. "క్రికెట్ కాసెట్టు ఉంటే చెప్పు, కదలకుండా కూర్చుంటా" అన్నాడు. ఆ మాట పట్టుకుని నేను ప్రొద్దుటూరు బస్సెక్కాను. అక్కడ గుడ్డల అంగళ్ళ వీధిలో ఒక శెట్టి కొడుకు కొత్తగా టీవీ గేముల అంగడి పెట్టాడు. క్రికెట్ కాసెట్టు అసలు ఎవరూ తయారు చేయలేదని చెప్పి, నా ముఖం చూసి జాలిపడి, అద్దాల బీరువాలోంచి ఒకటి తీశాడు. బేస్‌బాల్ అంట, అమెరికావాళ్ళకు ఇదే క్రికెట్ అంట. డబ్బా మీద బొమ్మలో ఒకడు కర్ర ఎత్తి నిలబడ్డాడు, ఇంకొకడు బంతి విసురుతున్నాడు. నాకు అంతకంటే రుజువు అక్కర్లేకపోయింది. ధర నాలుగు వందలు. నూరు ఆటల కాసెట్టు నూటయాభై అయితే ఒక్క ఆట ఉన్నది నాలుగు వందలెట్లా అని అడిగితే, ఒక్కటే కాబట్టే అంత ధర అన్నాడు. ఇంటికొచ్చి ఆ మాట చెబితే మా జేజి, ఒక్క కొడుకును కన్నవాళ్ళు కూడా ఇట్లాగే మిడిసిపడతారంది.

నేను ఎండాకాలం ట్యూషన్లు చెప్పి దాచుకున్నది అందులో సగానికి కాస్త ఎక్కువ. మిగిలింది ఎట్లా తగ్గించాలి అన్నదాని మీద నేను చేసిన ఆలోచన పరీక్షలకు చేసి ఉంటే డాక్టరును అయ్యేదాన్ని. అద్దెకు తెద్దామనుకున్నాను. రోజు అద్దె తక్కువే గానీ, రోజూ ప్రొద్దుటూరు పోయి రావడానికి బస్సు చార్జీలు కలిపి చూస్తే అద్దెకు తెచ్చుకునేవాడి కంటే కొనుక్కునేవాడే తెలివైనవాడని తేలింది. పాతది ఇచ్చి కొత్తది తీసుకుందామని నూరు ఆటల కాసెట్టు పట్టుకుపోతే, శెట్టి కొడుకు దాన్ని అటూ ఇటూ తిప్పి ఒక కూల్‌డ్రింకు ఖరీదు చెప్పాడు. పండగ తగ్గింపు ఎప్పుడని అడిగితే దీపావళికి అన్నాడు, ఎలక్షన్లు అప్పటిదాకా ఆగవు కదా. డబ్బా లేకుండా ఇస్తే ఏమైనా తగ్గిస్తావా అని కూడా అడిగాను. చివరికి వీధిలో టీవీ గేములున్న ఇళ్ళవాళ్ళం నలుగురం వాటాలు వేసుకుందామన్నాం. అందరూ ఒప్పుకున్నారు. కాసెట్టు ఎవరింట్లో ఉండాలి అన్న దగ్గర రెండు వర్గాలయ్యాయి. ఆ వర్గాల మధ్య రాజీకి ఒక పెద్దమనిషి వచ్చేసరికి నేను నా వాటా వెనక్కి తీసుకుని బయటపడ్డాను.

అప్పుడు వచ్చాడు మా చిన్నమామ. అమ్మకు తమ్ముడు, పులివెందుల చుట్టుపక్కల సంతల్లో ఎద్దుల బేరగాడు. వీడియో గేమంటే ఏమిటో మామకు తెలియదు, తెలుసుకోవాలనీ అనుకోలేదు. ధర ఎంత చెబుతున్నారు, నీ దగ్గర ఎంత ఉంది, రెండే అడిగాడు. "నోటితో ధర చెప్పినాడంటే వానికి బేరం రాదని అర్థం పాపా. నీ దగ్గరుండే దుడ్లు ఇట్లీ, పద పోదాం" అని భుజం మీది తువ్వాల దులిపి మళ్ళీ వేసుకున్నాడు.

అంగట్లో శెట్టి కొడుకు డబ్బా మీద అంటించిన ధర చీటీ చూపించి, ఒక్కటే ధర అన్నాడు. మామ ఆ మాట వినపడనట్టే కాసెట్టును డబ్బాలోంచి తీయించి వెల్లకిలా తిప్పాడు. అడుగున మెరిసే ఇత్తడి గీతల వరస ఉంటుంది కదా, ఎద్దు నోరు తెరిచి వయసు చూసినట్టు దాన్ని వెలుతురుకు పెట్టి చూసి, పండ్లు బాగుండాయి, ఇంకా లేతదే అన్నాడు. శెట్టి కొడుకు నవ్వాపుకున్నాడు. గల్లాపెట్టె వెనక కూర్చున్న ముసలి శెట్టి మాత్రం నవ్వలేదు, ముందుకు వంగాడు. ఆయన ఒకప్పుడు పత్తి వ్యాపారం చేసినవాడు. మామ తన కుడిచేతి మీద తువ్వాల కప్పగానే ఆయన కళ్ళద్దాలు తీసి పక్కన పెట్టి, చొక్కా చేయి మడిచి, తన చేతిని కూడా తువ్వాల కిందికి పోనిచ్చాడు. ఇంక చూడాలి. పైన ఇద్దరూ రోడ్డు వైపు చూస్తూ వానల గురించీ శనక్కాయల గురించీ మాట్లాడుకుంటున్నారు. కింద వేళ్ళు వేళ్ళు పట్టుకుని ధర చెబుతున్నాయి, కాదంటున్నాయి, మళ్ళీ చెబుతున్నాయి. తువ్వాల మాత్రం కోడిపిల్లల్ని కప్పిన గంపలా కదులుతోంది. కాసేపటికి ఇద్దరూ చేతులు తీసి చప్పుడయ్యేలా చేతిలో చెయ్యి వేసుకున్నారు. బేరం కుదిరింది.

మామ నోట్లు తీసిచ్చాడు. ముసలి శెట్టి వాటిని చూసి మామ ముఖం చూశాడు. ఎక్కడ తిరకాసు వచ్చిందో తర్వాత బస్సులో మామ చెబితే నాకు అర్థమైంది. "ఆయప్ప పత్తి లెక్కలో ఉండాడు, నేను దూడల లెక్కలో ఉండా" అన్నాడు. పత్తి బేరంలో వేలికి నూరట, దూడ బేరంలో వేలికి యాభై. ఇద్దరూ పట్టుకున్నవి అవే వేళ్ళు, ఇద్దరూ సంతోషంగానే ఒప్పుకున్నారు, ధరలు మాత్రం రెండు. ఇప్పుడు ఏం చేయాలి? కుదిరిన బేరం చెడగొట్టకూడదు, తువ్వాల కింది ధర పైకి చెప్పకూడదు. రెండూ కట్టుబాట్లే. కాబట్టి ధర తేడా వచ్చిందన్న సంగతి కూడా తువ్వాల కిందే చెప్పుకోవాలి. చేతులు మళ్ళీ లోపలికి పోయాయి. శెట్టి కొడుకు ఓపిక పట్టలేక, నాయనా నోటితో మాట్లాడుకోండి అన్నాడు. చర్చిలో ఈల వేసినవాణ్ణి చూసినట్టు ఇద్దరూ వాణ్ణి చూశారు. చాలాసేపటికి ముసలాయన ఉన్నట్టుండి గట్టిగా నవ్వి, కాసెట్టు నా చేతిలో పెట్టాడు. మామ అంతటితో ఊరుకున్నాడా? ఎద్దును కొంటే పలుపుతాడు కూడా ఇవ్వాలని వాదించి, ఒక పాత జాయ్‌స్టిక్ వైరుతో సహా ఊడబెరికాడు. చివరికి ధర ఎంతకు తెగిందో నాకు ఇప్పటికీ తెలియదు. కాసెట్టు రంగు ఒక పార్టీ జెండా రంగే కావడంతో, బస్సులో ఎందుకొచ్చిన గొడవని మామ దాన్ని అదే తువ్వాలలో చుట్టి ఒళ్ళో పెట్టుకున్నాడు.

అన్న దాన్ని చూసి మొదట తిట్టాడు. బంతి నేల మీద టప్పా పడదు, పరుగు తీస్తే ఎదురు కొనకు పోకుండా పక్కకు పోతాడు, అక్కడినుంచి ఇంకో పక్కకు పోతాడు. తెర మీద 'స్ట్రైక్' అని పడితే బంద్ ఏమోననుకున్నాం. మూడు స్ట్రైకులు కాగానే వాడు అవుట్. మా జేజికి అది మాత్రం న్యాయంగానే కనిపించింది, మూడుసార్లు స్ట్రైకు చేస్తే ఎవరైనా పనిలోంచి తీసేస్తారంది. ఇంతమంది దుడ్డుకర్రలు పట్టుకుని తిరుగుతున్నారు, వీళ్ళు ఏ నాయకుడి మనుషులని కూడా అడిగింది. మాది బ్లాక్ అండ్ వైట్ టీవీ కావడంతో ఏ జట్టుది ఏ రంగో తెలిసేది కాదు. మా నాయన, అదే మేలు అన్నాడు. అన్న తిట్టుకుంటూనే ఆడాడు, ఆడుతూ ఇంట్లో ఉన్నాడు. రోజూ నన్ను చిత్తుగా ఓడించేవాడు. మధ్యాహ్నం వాడు నిద్రపోయాక నేను టీవీ గొంతు తగ్గించి ఒక్కదాన్నే సాధన చేసేదాన్ని.

పోలింగు దగ్గరకొచ్చింది. మా నాయన ఎలక్షన్ డ్యూటీకి ముందురోజు పొద్దున్నే వెళ్ళిపోయాడు. ఆ పగలే ఇంటి ముందు జీపు ఆగింది. నిండా అన్న స్నేహితులు, అందరి తలల మీదా అవే టోపీలు. పులివెందులలో టోర్నమెంటు అన్నారు. ఎలక్షన్ల ముందురోజు టోర్నమెంటు ఏమిటో చిన్నపిల్లవాణ్ణి అడిగినా చెబుతాడు. అన్న లోపలికెళ్ళి చొక్కా మార్చుకుని వచ్చాడు. అమ్మ తలుపు దగ్గర నిలబడింది. జేజి కళ్ళు మూసుకుంది. నేను రెండో జాయ్‌స్టిక్ తీసి అన్న ముందుకు చాపాను.

"ఒక్క ఆట ఆడి పోన్నా. గెలిస్తివంటే నేనే జీపెక్కిస్తా. ఓడితే మాత్రం ఈ దినం యాడికీ పోగూడదు."

అన్న జీపు వైపు చూశాడు, నా వైపు చూశాడు, చాప మీద కూర్చున్నాడు. ఆ రోజు నేను ఆడిన ఆట ఏ అమెరికావాడూ ఆడి ఉండడు. విసిరిన బంతి విసిరినట్టే వాడి కర్రను దాటిపోతోంది. స్ట్రైకు మీద స్ట్రైకు. నా వాళ్ళు మైదానం చుట్టూ పరిగెత్తి వస్తూనే ఉన్నారు. బయట హారన్ మోగింది. ఒకడు లోపలికొచ్చి, ఆడపిల్లతో ఏం ఆటరా, లేయ్ అన్నాడు. అన్న టీవీ మీదినుంచి చూపు తిప్పలేదు. "చెల్లెలి చేతిలో ఓడిపోతాండానబ్బా. ఇట్ల ఓడి మధ్యలో లేచొస్తే దినామూ మీరే నవ్వుతారు నన్ను. మీరు పాండి, నేను ఎనకాల బస్సుకొస్తా" అన్నాడు. వాళ్ళు నవ్వుకుంటూ వెళ్ళిపోయారు. నేను గెలిచాను. అన్న బస్సుకు పోలేదు. చీకటి పడుతుండగా ఆ జీపు అద్దాలు లేకుండా తిరిగొచ్చింది. లోపలికొచ్చి అన్నను పిలిచినవాడి కుడిచెయ్యి మళ్ళీ బ్యాటు పట్టుకునేలా బాగుపడలేదు. ఆ రాత్రి మా ఇంట్లో ఎవరూ అన్నం తినలేదు.

ఎలక్షన్లు అయిపోయాయి, ఒకరు గెలిచారు. అన్న చిలమకూరు దగ్గర సిమెంటు ఫ్యాక్టరీలో ఉద్యోగం చేస్తున్నాడు, జుట్టు నెరిసింది. ఈ కథను నేను చెప్పని పెళ్ళి లేదు, పురుడు లేదు. మా అన్న ప్రాణాన్ని నేను కాపాడానని పైకి అనను గానీ, వినేవాళ్ళకు అట్లాగే అర్థమయ్యేలా చెబుతాను. పోయిన ఏడు ఒక పెళ్ళిలో చెప్పడం ముగించి చెయ్యి కడుక్కుంటుంటే అన్న పక్కకొచ్చి నిలబడ్డాడు.

"అమ్మీ, ఆ దినం నువ్వు గెలిస్తివనుకుంటాండావా? జీపు చూసినకాన్నించి నాకు కాళ్ళల్లో శక్తి లేకపాయ. భయమైతాందని వాళ్ళతో ఎట్ల చెప్తా? అంత లోపల నువ్వు ఆట అంటివి. కర్ర ఊపకుండా కూచ్చుంటి."

ఎర్రటి ఎండల్లో నిద్ర మానుకుని నేను చేసిన సాధనంతా ఏమైనట్టు? ఇన్నేళ్ళూ ఎందుకు చెప్పలేదని అడిగాను. నువ్వు అంత సంబరంగా చెప్పుకుంటుంటే ఎట్లా చెప్పేదన్నాడు. నాకు కోపం వచ్చింది, వెనకే ఏడుపూ వచ్చింది. మా ఊళ్ళో ఇరవై ఏళ్ళ మగపిల్లవాడు చెల్లెలి చేతిలో ఓడిపోయానని పదిమంది ముందు చెప్పగలిగాడు గానీ, భయమేస్తోందన్న ఒక్క మాట చెప్పలేకపోయాడు. ఆ జీపులో కూర్చున్నవాళ్ళలో ఇంకెంతమందికి కాళ్ళు వణికాయో. వాళ్ళ ఇళ్ళల్లో పట్టుబట్టే చెల్లెళ్ళు లేకపోయారు.

ఆ చాప మీద జాయ్‌స్టిక్ విరిగేలా పట్టుకుని, లోకాన్నే ఓడిస్తున్నాననుకున్న ఆ మొండిపిల్లను తలచుకుంటే ఇప్పుడు నవ్వొస్తుంది, కాస్త ముద్దూ వస్తుంది. మొన్న అన్న కూతురు, ఆ ఆటలో నిజంగా ఎవరు గెలిచారత్తా అని అడిగింది. నేనేనని చెప్పాను. అన్న పక్కనే పేపరు చదువుకుంటున్నాడు. తలెత్తకుండానే అవునన్నాడు.