ఏ పెట్టెలో వేశావని అడిగినందుకు

ఆంధ్ర రాష్ట్రం ఏర్పడ్డాక తొలి ఎన్నికలు జరిగిన ఏడాది వేసవిలో, పల్లెల్లో జనం ఎవరి మాట విని ఓటేస్తారన్న విషయం మీద నేను పరిశోధన చేస్తుండేవాణ్ణి. ప్రొద్దుటూరులో గది తీసుకుని, పొద్దున్నే బస్సెక్కి జమ్మలమడుగు దగ్గరి ఒక ఊరికి వెళ్లేవాణ్ణి. అప్పట్లో ఒక్కో అభ్యర్థికి ఒక్కో పెట్టె. దాని మీద గుర్తు అంటించి తెర వెనక పెట్టేవారు. ఓటరు తన చీటీని నచ్చిన పెట్టెలో వేసి రావాలి.

మూడు రోజులు ఇల్లిల్లూ తిరిగాను. అందరిదీ ఒకటే జవాబు.

"పెద్దాయన చెప్పిన పెట్టెలోనే ఏసినాం సార్."

పెద్దాయనంటే ఆ ఊరి పొలాల్లో సగానికి ఆసామి. ఆయన మాటకు ఎదురు చెప్పి ఊరొదిలిన కుటుంబాల గురించి బస్సులోనే విన్నాను.

నాలుగో రోజు చివరి వీధిలో, నాపరాళ్ల అరుగు మీద శెనక్కాయలు ఒలుస్తున్న ఒక భర్త లేని ఆడమనిషిని అడిగాను. ఆమె అటూ ఇటూ చూసింది.

"నేను ఇంగో పెట్టెలో ఏసినా. తెర ఎనకాల సూసేదెవురు?" అని నవ్వింది. అంతలోనే నవ్వు ఆపేసి, "ఏంది సారూ, రాస్తాండావా?" అంది.

అప్పటికే నోటు పుస్తకంలో రాసేశాను. పేరుతో సహా రాశాను.

వీధి మలుపు తిరగ్గానే ఒక మనిషి నా దారికి అడ్డం నిలబడ్డాడు. "పెద్దాయన బువ్వకు రమ్మన్నాడు. ఆ పుస్తకం గూడా తెమ్మన్నాడు."

పెద్దాయన ఇంటి వసారాలో పదిమంది దాకా కూర్చుని ఉన్నారు. నా ముందు సంగటి, ఊరిబిండి పచ్చడి పెట్టారు.

"మావోళ్లు ఏం జెప్పినారో సదువు, విందాం," అన్నాడు పెద్దాయన.

నేను రాసుకున్నదంతా ఇంగ్లీషులో. ఒక్కొక్కటే తెలుగులో చెబుతూ వచ్చాను. ఆమె పేరు దగ్గర మాట మార్చాను. "ఈమె కూడా మీరు చెప్పిన పెట్టెలోనే..." అన్నాను.

ఆయన నన్నే చూస్తూ పుస్తకం అందుకుని, పక్కనున్న ముసలి కరణం చేతిలో పెట్టాడు. "నీకు ఇంగిలీషు వచ్చు గదా, సూడప్పా."

కరణం కళ్లజోడు పెట్టుకున్నాడు. ఆయన వేలు వరసల వెంట జారుతూ వచ్చి ఆమె పేరు మీద ఆగింది. ఆయన తలెత్తి నన్నొకసారి చూశాడు.

"సారు సదివినట్టే ఉండాది," అని పుస్తకం మూసి నాకిచ్చాడు.

తరవాత బస్సు ఆగే చోటికి ఆ కరణమే వచ్చాడు. "ఆ కాగితం కాల్చెయ్. మళ్లా ఈ పక్కకు రావాకు," అని సమాధానం కోసం కూడా ఆగకుండా వెళ్లిపోయాడు.

గది తలుపు గడియ పెట్టుకుని ఆ కాగితం కాల్చాను. అయినా భయం పోలేదు. ముసలాయన ఎప్పుడైనా నోరు జారితే? అరుగు మీద ఆమె మాటలు ఇంకెవరైనా విని ఉంటే? ఆ వైపు నుంచి వచ్చిన బస్సు కనిపిస్తే చాలు, ఏం కబురు వినాల్సి వస్తుందోనని పక్క సందులోకి తప్పుకునేవాణ్ణి. నా పరిశోధనలో ఆ ఊరంతా ఒకే మాట మీద నిలబడిందని రాశాను. అది అబద్ధమని నాకు తెలుసు.

కొన్ని నెలల తరవాత ప్రొద్దుటూరు సంతలో ఆమె కనిపించింది. నన్ను గుర్తుపట్టింది. కొంగు తల మీదికి లాక్కుని జనంలోకి జరిగిపోయింది. బతికే ఉందన్న ఊరట కలిగింది. కానీ పలకరించలేదు. మమ్మల్ని ఎవరైనా గమనిస్తున్నారేమోనని చుట్టూ చూసి, నేనూ మరో దారి పట్టాను.