బతికున్న మనిషి ఫొటోకు దండ

శాంతి గురించి ఇంతవరకూ నన్ను ఎవరూ అడగలేదు. అరకులోయలో ఫొటో స్టూడియో పెట్టి, అందులోనే జుట్టు నెరిసిపోయింది. తగాదా పడ్డ ఊళ్ల మనుషుల ముఖాలు తీయడం, ఆ ముఖాలతోనే వాళ్లను మళ్లీ మాటల్లోకి దించడం, ఇదే నేను బతుకంతా చేసిన అసలు పని. దాని మీద నగరంలో సభలు జరిగాయి. నా ఫొటోలతో క్యాలెండర్ వేశారు. నన్ను మాత్రం వేదిక మీదికి పిలవలేదు. ఒక్కసారి పిలిచారు, మైకు స్టాండు పక్కకు జరపమని. అది కూడా నాకు గుర్తుంది.

స్టూడియో అంటే సంతకు పోయే దారిలో ఒక గది. కార్డులకు కావలసిన చిన్న ఫొటోలే దాని తిండి. సీజన్‌లో కింది నుంచి పర్యాటకులు వస్తారు. కొండ చీర అద్దెకు కట్టుకుని, నెత్తిన ఖాళీ కుండ పెట్టుకుని, నాచురల్‌గా తీయండి అంటారు. తీస్తాను. నా కడుపూ నిండాలి కదా.

నా పద్ధతి ఒక సంత రోజున కరెంటు పోవడం వల్ల పుట్టింది. స్టూలు మీద కూర్చున్నవాడి ముఖం సగం చీకట్లో ఉంది. గుమ్మంలో వంతు కోసం నిలబడ్డవాణ్ని పిలిచి, తెల్లటి థర్మోకోల్ అట్ట చేతికిచ్చి, బయటి వెలుగు కూర్చున్నవాడి చెంప మీద పడేలా పట్టుకోమన్నాను. వాళ్లిద్దరివీ పగబట్టిన ఊళ్లని నాకు తెలియదు. అట్ట పట్టుకున్నవాడు మొదట గోడవైపు చూశాడు. గోడవైపు చూస్తే వెలుగు గోడ మీదే పడుతుంది. చివరికి వాడు ఎదుటివాడి ముఖాన్ని చూడక తప్పలేదు. ఎక్కడ నీడ ఉందో, ఎక్కడ వెలుగు ఎక్కువైందో, కదలకుండా చాలాసేపు చూశాడు. పగవాణ్ని అలా చూడటం కొట్టడం కన్నా కష్టం. ఆ తర్వాత దాన్నే నియమం చేసుకున్నాను. అట్ట పగవాడే పట్టుకోవాలి. అచ్చు వేసిన పెద్ద ఫొటోను ఆ అట్ట పట్టుకున్నవాడే ఇంటికి తీసుకుపోయి గోడకు పెట్టుకోవాలి.

ఇందులో కవిత్వమేమీ లేదు. పక్క ఊరి మనిషి ముఖం మన గోడ మీద ఉంటే, ఆ ఊరి మీద రాయి వేయడానికి చెయ్యి కాస్త ఆలస్యంగా లేస్తుంది. అంతే.

ఇక పైఊరు, కిందూరు సంగతి. తాగే నీళ్లు పైఊరి ఊట నుంచి గొట్టంలో కిందూరికి దిగుతాయి. పైఊరి కాఫీ బస్తాలు జీపెక్కాలంటే కిందూరి మీదుగానే పోవాలి. ఒకళ్లు గొట్టంలో గుడ్డలు కుక్కితే, ఇంకొకళ్లు దారికి అడ్డంగా దుంగ పడేసేవాళ్లు. పైఊళ్లో అందరూ మాట వినే ఒక ముసలమ్మనీ, కిందూళ్లో అలాంటి ముసలాయననీ నా గదికి రప్పించడానికి ఎన్ని సంతలు తిరిగానో నాకే తెలుసు. వాళ్ల ఇళ్లలో మాట్లాడే భాష వేరు. కానీ నా ముందు తెలుగులోనే తిట్టుకున్నారు, నాకూ తెలియాలని.

ముసలమ్మ అట్ట పట్టుకుంది.

“ఇటు తిరుగు. ఆ దవడ సీకట్లో ఉంది.”

“నా దవడతో నీకేటి పని?”

“నాకేటి పని. ఈ బాబు సెప్పినాడు, సేత్తన్నాను.”

“సెయ్యి వొణుకుతోంది నీకు.”

“ఆ మొకం సూత్తే వొణకదేటి మరి.”

ముసలాయన నవ్వాడు. నేను తీసింది ఆ నవ్వు ఆగిపోయిన మరుక్షణం. తర్వాత ఆయన అట్ట పట్టుకున్నాడు, ఆమె కూర్చుంది. ఫొటోలు చేతికిచ్చినప్పుడు ఆమె, “దీన్ని గోడకెడితే మా ఇంట్లో ఎలకలుండవు” అంది. ఆయన, “నీదెడితే మా ఇంట్లో మనుసులే ఉండరు” అన్నాడు. గొట్టంలో గుడ్డలు తీసేశారు, దారి మీద దుంగ తీసేశారు. ఆ ఏడాది కాఫీ బస్తాలు కదిలాయి. మరుసటి ఏడూ కదిలాయి. ఎవరూ ప్రసంగం చేయలేదు.

అప్పుడు వచ్చారు మీరు. శాంతి సంస్థవారు, సముద్రం ఒడ్డున ఏసీ హాలున్నవారు. మీ మేడం గారు పైఊళ్లో ముసలమ్మ ఇంటి గోడ మీద ముసలాయన ఫొటో చూసి, ఈ ఫేస్‌లో డెప్త్ ఉంది, ప్రదర్శనకు ఇది చాలు అన్నారు. రెండూ తీసుకోండి, అవి జంట, ఒకదాని ముందు ఒకటి ఉంటేనే అర్థం అన్నాను. గోడ సరిపోదన్నారు. పోనీ, ఫొటో పట్టుకుపోతున్నట్టు కిందూళ్లో ఆగి ముసలాయనకు చెప్పండి అన్నాను. మా స్టాఫ్ చెప్తారు సార్ అన్నారు. ముసలమ్మే ఆ ఫొటోను పాత చీరలో చుట్టి ఇచ్చింది. మీ జీపు కిందూరు మధ్య నుంచే పోయింది. ఆగలేదు. కోళ్లు పక్కకు తప్పుకున్నాయి, అంతే.

ప్రారంభోత్సవానికి నాకు పిలుపు లేదు. తెల్ల పావురాలు ఎగరేశారని తర్వాత విన్నాను. అవి అద్దె పావురాలట. హాలు చుట్టూ ఒక చుట్టు తిరిగి యజమాని బుట్టలోకి వచ్చి కూర్చున్నాయట. ఆ సభలో ఇంటికి దారి తెలిసినవి అవి మాత్రమే.

ఒక సంత రోజున ముసలాయన కొడుకు నా గదిలోకి వచ్చి, సెల్‌ఫోను నా ముఖం ముందు పెట్టాడు. అందులో వాళ్ల నాన్న ఫొటో. ఫొటోకు బంతిపూల దండ. కింద దీపం.

“ఏటిది?” అన్నాడు.

నేను ఫోను చేతిలోకి తీసుకున్నాను.

“మా అయ్య ఇంటికాడ సుట్ట కాలుత్తన్నాడు. ఇక్కడ సంపేసినారు. పైఊరోళ్లకి దాసమని ఇత్తే, దండేసి సచ్చినోణ్ణి సేసినారు.”

“పైఊరివాళ్లు కాదు. ఫొటో నగరంలో ఉంది.”

“నగరానికి ఎవులిచ్చినారు? మాకు సెప్పకండా ఎవులిచ్చినారు?”

దానికి జవాబు మీ దగ్గర ఉంది. అందుకే అతని ఎదుటే మేడం గారికి ఫోన్ చేశాను. దండ ఎందుకు వేశారని అడిగితే ఆవిడ అన్న మొదటి మాట నేను చచ్చేదాకా మరిచిపోను.

“ఓ, ఆయన ఉన్నారా ఇంకా?”

తర్వాత సర్దుకుని, అది గౌరవం సార్, మన సంస్కృతి కదా అన్నారు. ఏ సంస్కృతి? మీ ఇళ్లలో బతికున్న తండ్రుల ఫొటోలకు దండలు వేసి దీపాలు పెడతారా? కొండ మీది ముసలివాడు ఫొటోలో ఉన్నాడంటే పోయే ఉంటాడని ఎలా తేల్చుకున్నారు? ఆ రోజు తర్వాత ఆవిడ నా ఫోను ఎత్తలేదు.

ముసలాయన మాత్రం మొదట తేలిగ్గానే తీసుకున్నాడు. “దండేసినారు గానీ సుట్టెట్టనేదేటి?” అని నన్నే ఎగతాళి చేశాడు. కానీ మంచు పడే రోజుల్లో ఆయనకు జ్వరం పట్టుకుంది, తొందరగా దిగలేదు. కొడుకు ఆ జ్వరాన్ని దండకు ముడిపెట్టాడు. దారి మీదికి దుంగ తిరిగి వచ్చింది. పైఊళ్లో కాఫీ బస్తాలు ఇళ్లలోనే ఉండిపోయాయి. గొట్టం ఆగిపోయింది. కిందూరి ఆడవాళ్లు ఇప్పుడు బిందెలతో కింద పారే గెడ్డకు దిగుతున్నారు. ప్రదర్శన అయ్యాక మీ కొరియర్ తిరిగి తెచ్చిన ఫొటోను కిందూరివాళ్లు ముట్టుకోవడం లేదు, పైఊరివాళ్లు గోడకు పెట్టడం లేదు. నా గదిలో గోడవైపు తిప్పి పెట్టాను.

రెండు ఊళ్ల పెద్దలూ ఒక్కసారి కూర్చున్నారు. దండ నగరం వాళ్లు వేశారని నేను చెప్పాను. ఈ ఊళ్ల పద్ధతిలో తప్పు చేసినవాడి తరఫున ఇంకొకడు మాట్లాడితే చెల్లదు. చేసినవాడే వచ్చి, వాకిట్లో నిలబడి, నేను చేశాను అని నోటితో అనాలి. అన్నాక ఎవరూ పెద్దగా తిట్టరు. భోజనం కూడా పెడతారు. అనకపోతే మాత్రం ఏ పంచాయితీ తేలదు.

ముసలమ్మ నన్ను పక్కకు పిలిచింది.

“బాబూ, నువ్వే ఏసినానని సెప్పేసుకో. గొడవొదిలిపోద్ది.”

“నేను వెయ్యలేదు.”

“ఎయ్యలేదని నాకు తెల్దేటి? ఒక్క మాట. నీకేటి పోద్ది?”

“నేను వెయ్యని దండ నా మెడకు తగిలించుకోను.”

“అయితే ఆళ్లు నీళ్లు మోసుకోవాలి, మా కాఫీ బూజట్టుకోవాలి. నీ పంతం సల్లగుండాల” అని లేచి పోయింది. అప్పటి నుంచి సంతలో నన్ను చూసి తల తిప్పుకుంటోంది.

తిప్పుకోనివ్వండి. నేను ఒప్పుకుంటే వాళ్ల పంచాయితీ తేలుతుంది, మీరు మాత్రం మీ హాల్లో మరో ముసలివాడికి దండ వేస్తారు. అబద్ధం మీద కూర్చోబెట్టిన రాజీ నాకు అక్కర్లేదు. పంతమంటే పంతమే.

దారి చెబుతాను. కిరండూల్ రైలెక్కి అరకులో దిగితే జీపులు దొరుకుతాయి. దుంగ దగ్గర దిగి నడవాలి. మీ పావురాలు అక్కర్లేదు, బ్యానరు అక్కర్లేదు, మేడం గారే రావాలనీ లేదు. ఆ దండ చేత్తో పట్టుకుని ఆ ఫొటో మేకుకు తగిలించిన మనిషి ఒకరున్నారు. కిందూళ్లో ముసలాయన మంచం మీద ఇంకా బతికే ఉన్నాడు. ఆయన వాకిట్లో ఆ మనిషి నిలబడి ఒక్క మాట అనాలి. ఆ మనిషి ఎవరు? ఎప్పుడు వస్తున్నారు? ఈ రెండు ప్రశ్నలకు జవాబు చెప్పండి.