గ్వాసకాకా చేసిన ఆదివారం

మా అత్తమ్మ ఎండాకాలమంతా తాండూరులో చిన్నకొడుకు దగ్గర ఉంటుంది. వానలు మొదలుకాగానే వికారాబాద్‌కు, మా దగ్గరికి వస్తుంది. అనంతగిరి గాలికి ఒళ్లు బాగవుతుందని పేరుంది కాబట్టి ఈ ఏర్పాటును ఎవరూ కాదనలేదు. గాలి సంగతి ఎలా ఉన్నా, ఆ ఏడు మా ఇంటికి వచ్చాక ఆమె తిండి బాగా తగ్గిపోయింది. కొత్తగా కట్టించిన పళ్లసెట్టు గ్లాసులో నీళ్లలో హాయిగా ఉండేది. ఆమె మాత్రం మజ్జిగన్నంలో వేళ్లు ఆడించి లేచిపోయేది.

కోడలిగా నాకు ఇది ఆరోగ్యం సంగతి కన్నా ముందు పరువు సంగతి. తాండూరులో నిండుగా ఉన్న మనిషి వికారాబాద్‌లో చిక్కిపోతే ఎవరూ ఏమీ అనక్కర్లేదు, పెళ్లిళ్లలో చుట్టాల చూపులే చాలు. మా తోడికోడలు మంచిదే. మరిదికి కిరాణం దుకాణం ఉంది, ఇంట్లో మేలురకం కందిపప్పుకు కొదవలేదు, ఆమె చేతిలో ఓపికకూ కొదవలేదు. నేనేమో ఆఫీసు నుంచి వచ్చి చెప్పులు విడవకముందే కుక్కర్ పెట్టే మనిషిని. మా ఇద్దరి మధ్య పోటీ ఉందని మేము ఎన్నడూ ఒప్పుకోలేదు. అందుకే అది అన్నేళ్లు నిక్షేపంగా సాగింది.

ఉప్పు తగ్గించి, మెత్తగా, బలంగా ఉండేవి పెట్టమన్నాడు డాక్టరు. నేను ఫోన్‌లో వెతికాను. వెతగ్గా వెతగ్గా వెనిజులా దేశంలో ఒకావిడ తన వంటింట్లో నిలబడి అవకాడోతో పచ్చటి సల్సా చేస్తూ కనిపించింది. అవకాడో, పచ్చ క్యాప్సికం, ఉల్లిగడ్డ, వెల్లుల్లి, కొత్తిమీర, కాస్త వెనిగర్, కాస్త నూనె. పొయ్యి వెలిగించే పనే లేదు. దాని పేరు గ్వాసకాకా అట. ఆవిడ మాట ఒక్కటీ అర్థం కాలేదు కానీ, వెనక కుర్చీలో ఒక ముసలమ్మ, తల్లో అత్తో, చెంచాతో అది తింటూ నవ్వుతోంది. ఆ నవ్వు మా ఇంట్లో కూడా కావాలనిపించింది. వీలైతే తాండూరువాళ్లు చూస్తుండగా.

"ఏం జూస్తున్నవ్ బిడ్డా గంత సేపటి సంది?" అంది అత్తమ్మ.

"వంట చూస్తున్న అత్తమ్మా. గ్వాసకాకా."

"ఏ కాకా? మా కాకాలందరు ఎన్నడో పోయిరి గద."

మా ఆయన నవాబుపేట దగ్గర బడిలో పంతులు. ఆ వారం ఏదో పనిమీద హైదరాబాద్ పోతుంటే అవకాడోలు తెమ్మని చెప్పాను. ఆయన సాయంత్రం సంచీ దించితే బల్ల మీద టక్కుమని చప్పుడైంది.

"ఇవి పండ్లేనా, తాండూరు బండలా?" అన్నాను.

"పండుతయన్నడు దుకాణపాయన."

"ఎప్పుడు?"

"గది అడగలే."

అప్పటికే నేను తోడికోడలికి ఫోన్ చేసి, ఆదివారం అందరూ రండి, అత్తమ్మకు ఒక కొత్త వంట చేస్తున్నా అని చెప్పేశాను. "ఏం వంట అక్కా?" అని ఆమె అడిగితే, "వస్తె నువ్వే చూస్తవ్ గద" అని గొప్పగా ఫోన్ పెట్టేశాను కూడా.

ఆ సాయంత్రం అత్తమ్మను కూర్చోబెట్టి అవకాడో గురించి వివరంగా చెప్పాను. అది ఎక్కడ పుట్టిందో, అందులో ఉండే కొవ్వు గుండెకు ఎంత మంచిదో, అక్కడివాళ్లు దాన్ని మక్కపిండి రొట్టెలతో ఎలా తింటారో, అంతా. ఆమె చెంపకు చెయ్యి ఆనించుకుని శ్రద్ధగా వింది. మధ్యమధ్య "అట్లనా", "మస్తు దూరముంటది గావచ్చు గా దేశం" అంటూ ఉంది. ఇంత ఆసక్తిగా నా మాట విన్నవాళ్లు ఇంట్లో అప్పటిదాకా లేరు. నాకు ఉత్సాహం వచ్చి గింజను నీళ్లలో పెట్టి మొలకెత్తించడం గురించి కూడా చెప్పాను.

శనివారానికి కూడా కాయలు బండల్లాగే ఉన్నాయి. వాటిని నొక్కి నొక్కి నా బొటనవేలు నొప్పి పెట్టింది. అత్తమ్మ కాసేపు చూసి, "పేపర్ల సుట్టి ఒక అరటిపండు తోడు పెట్టి బియ్యం డబ్బాల ఎయ్యి. రేపటికి జర దారికొస్తయ్" అంది. మామిడికాయలు మాగేసిన చెయ్యి కదా, ఎక్కడి కాయైనా ఊహించగలదు అని మెచ్చుకున్నాను.

ఆదివారం పొద్దున వెనిగర్ లేదని గుర్తొచ్చింది.

"నిమ్మకాయ పిండరాదు?" అంది అత్తమ్మ.

"లేదు అత్తమ్మా, ఆ దేశంల ఎట్ల చేస్తరో అట్లనే చెయ్యాలె."

మా ఆయన బజారంతా తిరిగి, చివరికి స్టేషన్ దారిలో నూడుల్స్ బండి పెట్టుకునే అతని ఇంటికే పోయి, అడుగున నాలుగు చెంచాలు మిగిలిన సీసా పట్టుకొచ్చాడు. లేబుల్ ఎప్పుడో చెరిగిపోయింది. వాసన మాత్రం నిజమైనదే.

కాయలు కోశాను. మొదటిది లోపల నల్లబడి, దారాలు తేలి ఉంది. రెండోదానిలో సగం బాగుంది. మూడోది ఇంకా గట్టిగా ఉండి కత్తికి ఎదురుతిరిగింది. ఒక్కటి మాత్రం లోపల వెన్నలా, లేత పసుపుపచ్చగా, వీడియోలో ఉన్నట్టే ఉంది. ఆ ఒకటిన్నరను చెంచాతో మెదిపి, మిగతావన్నీ సన్నగా తరిగి కలిపాను. ఇంటిల్లిపాదికీ కలిపి ఒక చిన్న గిన్నెడు అయింది. గిన్నె చిన్నదిగా కనబడకుండా పెద్ద పళ్లెం మధ్యలో పెట్టి, చుట్టూ జొన్నరొట్టె ముక్కలు పేర్చాను.

తాండూరువాళ్లు పొద్దుటి రైలుకు దిగారు. తోడికోడలు చేతిలో ఒక గుడ్డసంచీ ఉంది. దాన్ని ఆమె ఎవరికీ ఇవ్వకుండా తలుపు వెనక పెట్టింది.

మరిది రొట్టెముక్క ముంచుకుని తిన్నాడు. "పచ్చడి మంచిగుంది వదినా. జర కారం తక్కువైంది."

"పచ్చడి కాదు, సల్సా."

"గదే, సల్సా పచ్చడి."

నేను దానికి బాధపడే లోపల తోడికోడలు కొంచెం నాలుక మీద పెట్టుకుని నావైపు చూసింది.

"అక్కా, ఇది బెణ్ణెహణ్ణు గదా?"

"ఏంది?"

"వెన్నపండు. మా బజార్ల సేడం దిక్కునుంచి వచ్చినాయన జూస్ దుకాణం పెట్టిండు. గాయన కన్నడంల గట్లనే అంటడు. ఎండకాలమంత అత్తమ్మకు రోజు గిదే ఇచ్చిన. పాలల్ల చక్కెరేసి."

నేను అత్తమ్మవైపు తిరిగాను. ఆమె వేలికి అంటిన సల్సాను ఎంతో ఏకాగ్రతతో నాకుతోంది.

"అత్తమ్మా, ఈ పండు మీకు తెలుసా?"

"తెల్వకేంది?"

"మరి నేను గంటసేపు చెప్తుంటే ఒక్క మాట అనలేదేంది?"

"నువ్వు మంచిగ చెప్తుంటివి బిడ్డా. పండు నాకు తెలుసు గని గా దేశం సంగతి నాకు తెల్వది గద."

మా ఆయన దగ్గు వచ్చినట్టు నటిస్తూ లేచి బయటికి పోయాడు. మరిది కూడా ఆయన వెనకే పోయాడు. మిగిలింది ఆడవాళ్లం. నా మొహం ఎలా ఉందో గాని, తోడికోడలు గబగబా, "నాతోని గూడ గంతే అక్కా. అక్క దగ్గర ఏం తింటవ్ అత్తమ్మా అంటె ఎన్నడు నోరు విప్పది" అంది.

"సర్వపిండి చేసిస్తే ఇష్టంగ తింటది" అన్నాను.

"సర్వపిండా? మా ఇంట్ల ముట్టనే ముట్టది! కడుపుల పడదంటది!"

ఇద్దరం కలిసి ఆమెను చూశాం. అత్తమ్మకు ఇక తప్పలేదు.

"ఈడ కూసొని ఆడిది అడుగుతె నువ్వేమనుకుంటవ్? ఆడ కూసొని ఈడిది అడుగుతె ఆమె ఏమనుకుంటది? ఏ ఇంటిది ఆ ఇంట్లనే తినాలె. అప్పుడు ఎవ్వరికి ఫికర్ ఉండది" అంది.

"అందుకని తిండి మానేస్తారా?"

"మానలే. గా పండు యాదికొస్తుండె, గంతే. గది యాదికొచ్చినంక ఇంకేం తినబుద్ధి గాలే."

అంటే, నేను ఆమె ఆకలి కోసం సముద్రాలు దాటి వెనిజులా దాకా పోయి తెచ్చినది, రైలెక్కితే గంటలోపు దొరికే ఊళ్లో ఉంది. దాని పేరు పైకి అంటే నా మనసు నొచ్చుకుంటుందని ఆమె చిక్కిపోతూ కూర్చుంది. నాకు కోపం వచ్చింది, సిగ్గు వచ్చింది. వాటిలో ఏది ముందు చూపించాలో తేల్చుకునే లోపల తోడికోడలు లేచి తలుపు వెనక సంచీ తెచ్చి విప్పింది. లోపల మెత్తగా పండిన వెన్నపండ్లు.

"అత్తమ్మకని తెచ్చిన. నువ్వేమన్న అనుకుంటవేమోనని బయటికి తియ్యలే" అంది.

నవ్వు ఆపుకోలేకపోయాను. ఆమె కూడా నవ్వింది. ఒకరి గురించి ఒకరం ఏమేం అనుకుంటున్నామో కొత్తగా చెప్పుకోవాల్సిన పనేమీ మిగల్లేదు.

ఇద్దరం వంటింట్లోకి పోయి రెండో గిన్నె చేశాం. వెనిగర్ అయిపోయింది కాబట్టి నిమ్మకాయే పిండాం. ఆమె పచ్చిమిర్చి, ఉప్పు కచ్చాపచ్చాగా దంచి వేసింది. ఆ దేశం ఆవిడ చూస్తే ఏమనేదో నాకు తెలియదు. అత్తమ్మ మాత్రం గిన్నె తన దిక్కు జరుపుకుని, రొట్టె మెత్తటి భాగాలు తుంచుకుంటూ కడుపునిండా తింది.

మరిది లోపలికి వచ్చాడు. అతనికి ఎప్పుడు ఏం అడగాలో తెలియదు. "అమ్మా, రెండిట్ల ఏది మంచిగున్నది?" అన్నాడు.

నేనూ తోడికోడలూ చేతులు కడుక్కోవడం ఆపేశాం. అత్తమ్మ ఆఖరి ముక్క నిదానంగా మింగి, నీళ్లు తాగి, కొంగుతో మూతి తుడుచుకుంది.

"కొత్తిమీర మంచిగున్నది" అంది.

ఆ వానాకాలమంతా తాండూరు నుంచి వచ్చేవాళ్ల చేత తోడికోడలు పండ్లు పంపింది. నేను వారంవారం సల్సా చేశాను. మళ్లీ ఎండలు ముదిరాక అత్తమ్మ తాండూరు వెళ్లింది. కొద్దిరోజులకు తోడికోడలు ఫోన్ చేసింది.

"నిన్న నేను గూడ గ్వాసకాకా చేసిన అక్కా. నువ్వు చెప్పినట్టే, అన్ని కొలిచి. అత్తమ్మ వాసన చూసి పక్కకు జరిపింది. నాకు పాలల్ల ఏసియ్యి బిడ్డా, గది కడుపుల పడది అన్నది."

"అయ్యో, ఇక్కడ మంచిగనే తిన్నది గద" అన్నాను.

"గందుకే అక్కా. అది నీ ఇంటి వంటయిపోయింది" అంది ఆమె, చిన్నబోయిన గొంతుతో.

ఇంకోసారి చేసి చూడమని ఓదార్చాను. ఫోన్ పెట్టేశాక ఆ రోజంతా నేను ఎంత సంతోషంగా ఉన్నానో చెప్పుకుంటే బాగుండదు.