బావ కాళ్ళకు ముందస్తు దండం

ఫుట్‌బాల్ కాళ్ళతో ఆడే ఆట అని ఈనాటి పిల్లలకు ఎవరూ చెప్పక్కర్లేదు. అరవయ్యో దశకం చివర్లో చీపురుపల్లిలో మేం ఆడేటప్పుడు మాకూ ఆ సంగతి తెలుసు గానీ, మనస్ఫూర్తిగా ఒప్పుకోవడమే కష్టంగా ఉండేది. మా ఇళ్ళల్లో కాలు అనేది నేలకు తప్ప ఇంక దేనికీ తగలకూడదు. పుస్తకానికి తగిలితే కళ్ళకద్దుకోవాలి. చేటకు తగిలినా, బియ్యపు గింజకు తగిలినా, పక్కన పడుకున్న తమ్ముడికి నిద్రలో తగిలినా చేత్తో తాకి కళ్ళకద్దుకోవాలి. మాటలు రాకముందే నేర్పిన పని కాబట్టి అది బుద్ధితో నిమిత్తం లేకుండా చేతికే వచ్చేసేది. అలాంటి పదకొండు మందిని పోగుచేసి, చొక్కాలు తొడిగించి, ఎదుటివాళ్ళ కాళ్ళ మధ్య నుంచి బంతి లాక్కురమ్మంటే ఏమవుతుందో మీరే ఊహించుకోండి. (బూట్లుంటే తోలుకు తోలు తగిలిందని సరిపెట్టుకునేవాళ్ళం. మా జట్టులో బూట్లున్నది గోలీ ఒక్కడికే. అవీ వాళ్ళ మేనమామవి.)

చీపురుపల్లి, రాజాం, బొబ్బిలి, పాలకొండ ఊళ్ళలోని నాలుగు చిన్న కాలేజీలు కలిసి ఏటా ఒక షీల్డు కోసం ఆడేవి. దసరా సెలవులు అవగానే మొదలై, వరికోతలు ముదిరేలోపు ముగిసేది. కోతలు ముదిరితే సగం జట్టు పొలాల్లో ఉండేది మరి. మేం ఒక్కో ఊరికీ ఒకసారి వెళ్ళాలి, వాళ్ళు మా ఊరికి ఒకసారి రావాలి. షీల్డంటే పెద్దగా ఊహించుకోకండి, టేకు చెక్క మీద ఇత్తడి రేకు. అయినా అది మా కాలేజీ గోడ ఎన్నడూ ఎక్కలేదు. సైన్యంలో పనిచేసి వచ్చిన మా డ్రిల్లు మాస్టారికి ఆ ఖాళీ గోడ చూస్తే అన్నం సహించేది కాదు. ఆయన మమ్మల్ని జతలుగా నిలబెట్టి ఒకరి పిక్కల మీద ఒకరిని తన్నుకోమనేవారు. తన్నాక దండం పెట్టినవాడు గ్రౌండు చుట్టూ పరుగెత్తాలి. మొదటి వారం గ్రౌండు లోపల ఉన్నవాళ్ళ కంటే చుట్టూ పరుగెత్తేవాళ్ళే ఎక్కువ. పోనుపోను మాకు ఆ అలవాటు తప్పింది. అంటే, కిందికి పోబోయే చేతిని మధ్యదారిలో ఆపి నిక్కరుకు తుడుచుకోవడం నేర్చుకున్నాం.

నేను ఫుల్‌బ్యాక్‌ని. నాలుగు కాలేజీల్లోనూ నా అంత గట్టి ఫుల్‌బ్యాక్ లేడని అప్పుడూ అనేవాణ్ణి, ఇప్పుడూ అంటాను. వేసిన రైల్వే గేటునైనా దాటొచ్చు గానీ వీణ్ణి దాటలేమని మాస్టారే ఒకసారి అన్నారు. (నాతో కాదు, ఆఫీసు గుమాస్తాతో. నేను కిటికీ పక్కన నిలబడి విన్నాను.) ఆ ఏడు షీల్డు మాదేనని నేను క్లాసులో ప్రకటించేశాను కూడా. కాకపోతే ఆ వేసవిలోనే మా ఇంట్లో ఒక శుభకార్యం జరిగింది. మా అక్కకు పెళ్ళయింది. పెళ్ళికొడుకు రాజాంలో ధాన్యం వ్యాపారస్తుల అబ్బాయి, డిగ్రీ ఆఖరి సంవత్సరం చదువుతున్నాడు. రాజాం జట్టుకు సెంటర్ ఫార్వర్డ్ కూడా అతనే. పెళ్ళిలో మా నాన్న పళ్ళెంలో పెట్టి కడిగిన కాళ్ళు, మా అమ్మ చెంబుతో నీళ్ళు పోసిన కాళ్ళు, తువ్వాలుతో నేనే తుడిచిన కాళ్ళు, అవి తీసుకుని అతను నా మీదికి ఆడడానికి వస్తాడన్న ఆలోచన పీటల మీద ఎవరికీ రాలేదు.

మొదట మేమే రాజాం వెళ్ళాం. ఆట మొదలైన కాసేపటికి బావ బంతి తోసుకుంటూ వచ్చాడు. మంచి ఒడుపున్న మనిషి, బంతి అతని వెనకాల కుక్కపిల్లలా తిరిగేది. నేను ఎదురెళ్ళి కాలు చాపాను. నా బొటనవేలు బంతికి కాక అతని ముంగాలికి తగిలింది. అంతే, నా నడుము దానంతటదే వంగింది, చెయ్యి దానంతటదే అతని కాలి వైపు పోయింది. అక్కడ కాలు లేదు, నేల తగిలింది, ఆ నేలనే కళ్ళకద్దుకున్నాను. కళ్ళు తెరిచేసరికి బంతి మా గోలు కర్రల మధ్య నుంచి దూరి అవతల మేకల మందలో ఉంది. బావ నవ్వుతూ వెనక్కి వచ్చి నా తల మీద చెయ్యి పెట్టి, "నూరేళ్ళు బతుకురా బావమర్దీ" అన్నాడు. రాజాం జనం విరగబడి నవ్వారు. రెండో సగంలో మళ్ళీ అదే జరిగింది. ఈసారి బావ తెలిసే కాలు నాకు తగిలించాడని నా అనుమానం. రెండు గోల్సుతో ఓడిపోయాం. తిరుగు బస్సు సగం దారికి వచ్చింది. మాస్టారు వెనక్కి తిరిగి, "ఏమయ్యా, ఆ జట్టులో నీకింకా ఎంతమంది చుట్టాలున్నారు?" అని అడిగారు. నేను నిజాయితీగా, "గోలీ మా పెద్దమ్మ కూతురి మరిది అవుతాడండీ" అన్నాను. ఆయన మళ్ళీ ముందుకు తిరిగి చీపురుపల్లి వచ్చేదాకా కిటికీలోంచి చూస్తూ కూర్చున్నారు.

ఇంటికి వచ్చేసరికి రాజాం నుంచి వచ్చిన ధాన్యం బండివాళ్ళ ద్వారా కబురు నాకంటే ముందే చేరింది. అమ్మ అన్నం వడ్డిస్తూ, "దండం పెట్టినావట, మంచి పని సేసినావు. కాని అల్లుడుగోరికి అసలు కాలెందుకు తగిలించినావురా?" అంది. ఆటలో తగులుతుందమ్మా అన్నాను. "మనం కాళ్ళు కడిగి పిల్లనిచ్చుకున్నాం. మీ అక్క ఆ ఇంట్లో అడుగెట్టి ఆరు నెలలైనా అవనేదు. రేపొద్దున ఆళ్ళత్తగారు 'మీ తమ్ముడు మావోడిని తన్నినాడంట' అంటే అది మొకం ఎక్కడెట్టుకుంటాది? సెప్పు, ఏటి సెప్తాది?" అంది. అన్నంలో చెయ్యి పెట్టించి, మళ్ళీ బావ మీద కాలెత్తనని నా చేత మాట అనిపించింది. నేనూ అన్నాను, ఆకలి మీద ఉన్నాను.

ఆ తర్వాత మేం బొబ్బిలిని, పాలకొండను చితక్కొట్టాం. (బొబ్బిలివాళ్ళకూ మా జబ్బే ఉంది. ఒకసారి వాళ్ళ ఫార్వర్డూ నేనూ ఒకేసారి వంగి తలలు ఢీకొట్టుకున్నాం.) చివరికి లెక్క ఎక్కడ తేలిందంటే, రాజాంవాళ్ళు మా ఊరొచ్చి ఆడే ఆఖరి ఆటలో మేం గెలిస్తే షీల్డు మాది. వాళ్ళు ఆట సమం చేసినా చాలు, షీల్డు వాళ్ళది. మాస్టారు నన్ను పక్కకు పిలిచి, "నీ బావను ఆపగలవా లేదా? ఆపలేనంటే ఇప్పుడే చెప్పు, ఆ చొక్కా ఇంకొకడికి తొడుగుతాను" అన్నారు. ఆపుతానండీ అన్నాను. చెప్పడానికి ధైర్యం ఎప్పుడూ తక్కువ కాలేదు నాకు. కానీ నాలుగు రోజులు నిద్ర సరిగ్గా పట్టలేదు. తన్నితే అక్క పరువు, తన్నకపోతే నా చొక్కా, కాలేజీ షీల్డు. పైగా అమ్మకిచ్చిన మాట ఒకటి.

ఆఖరి ఆట రోజు ఉదయం మంచం మీద మెలకువగానే ఉన్నాను. అమ్మ లేచింది. రోజూ చేసే పనే, కాలు కింద పెట్టేముందు వంగి నేలను తాకి కళ్ళకద్దుకుంది. చిన్నప్పుడు ఎందుకని అడిగితే, "ఇయాలంతా భూదేవి మీద తొక్కుతాం కదరా, ముందే సెప్పుకుంటన్నాను" అనేది. ఆ మాట గుర్తొచ్చి నేను మంచం మీద లేచి కూర్చున్నాను. భూదేవితోనే సాయంత్రం దాకా తొక్కే తొక్కుడంతటికీ పొద్దున్నే ఒక్క దండంతో సరిపెట్టుకోవచ్చంటే, బావ అంతకంటే పెద్దవాడా? నాకంటే తెలివైనవాడు మా తాలూకాలో పుట్టలేదనిపించింది. అమ్మతో మాత్రం చెప్పలేదు. తెలివైనవాళ్ళు అమ్మలతో అన్నీ చెప్పరు.

రైలు కట్ట పక్కన మా గ్రౌండు. జనం కట్ట మీద బారుగా కూర్చున్నారు. రెండు జట్లూ నిలబడ్డాయి, బొబ్బిలి నుంచి వచ్చిన రిఫరీ విజిల్ నోట్లో పెట్టుకున్నాడు. నేను నా చోటు వదిలి మధ్య గీత దాకా నడిచి, బావ ముందు వంగి, రెండు పాదాలూ తాకి, నిదానంగా కళ్ళకద్దుకున్నాను. కట్ట మీద కూర్చున్నవాళ్ళు లేచి చూశారు. బావ బిత్తరపోయి, "ఏటిరా ఇది, ఇంకా ఆట మొదలవనేదు" అన్నాడు. "ఇయాల తగిలేవాటన్నిటికీ కలిపి ముందే పెట్టీసినాను బావా. మరి మధ్యలో వంగను" అన్నాను. బావ నవ్వాడు. నవ్వుతూనే, అలవాటు ప్రకారం, అతని చెయ్యి నా తల మీదికి వచ్చింది. "సరేరా, గెలుపు నీదే, పో" అన్నాడు. విజిల్ మోగింది.

ఆ రోజు నేను ఆడిన ఆట గురించి నేనే చెప్పుకోవడం బాగుండదు గానీ, ఇంకెవరూ చెప్పడం లేదు కాబట్టి చెప్తాను. బావ మొదటిసారి వచ్చినప్పుడు బంతినీ, కాలినీ కలిపి తీసుకున్నాను. కాలు తగిలింది, చెయ్యి కదల్లేదు. రెండోసారి భుజంతో తోశాను. మూడోసారి అతను నా వైపు కాక పక్కకు తిరిగి బంతి ఇంకెవరికో ఇచ్చేశాడు. గేటు పడిందని నాకర్థమైంది. రెండో సగంలో మా ఎడమ వైపు కుర్రాడు కొట్టిన బంతి వాళ్ళ గోలీ చేతుల్లోంచి జారి లోపలికి దొర్లింది. (మా పెద్దమ్మ కూతురి మరిదే. ఆ ఇంటితో మాకు అప్పట్నుంచీ రాకపోకలు తక్కువ.) ఇంక కాసేపట్లో ఆట అయిపోతుందనగా బావ ఒంటరిగా బంతితో దూసుకొచ్చాడు. మధ్యలో నేనొక్కణ్ణే. కళ్ళు మూసుకుని కాలు విసిరాను. చీలమండకు చీలమండ తగిలిన చప్పుడు కట్ట మీదికి వినబడిందంటారు. బంతి పట్టాల వైపు పోయింది, బావ కింద పడ్డాడు, విజిల్ మోగింది, షీల్డు మాదైంది.

జట్టంతా మాస్టారిని భుజాల మీదికెత్తుకుంది. ఆయన ఏడుస్తున్నారు. కుర్రాళ్ళు నన్నూ ఎత్తుకోబోయారు గానీ, అప్పటికే నేను బావ పక్కన మోకాళ్ళ మీద ఉన్నాను. చీలమండ కళ్ళముందే బుర్రగుమ్మడిలా పొంగుతోంది. అంత కాలితో రాజాం బస్సెక్కించలేం. ఎడ్లబండి మీద మా ఇంటికే తీసుకెళ్ళాం. అమ్మ గుమ్మంలో నిలబడి అల్లుడి కాలి వైపు చూసింది, నా వైపు చూసింది. లోపలికి వెళ్ళి ఉప్పు వేయించి, గుడ్డలో మూటకట్టి, తెచ్చి నా చేతిలో పెట్టింది. "పట్టు" అంది. అంతే. డప్పులతో షీల్డు ఊరేగింపు బజారు వీధిలో తిరుగుతుంటే, నాలుగు కాలేజీల్లోకెల్లా గట్టి ఫుల్‌బ్యాక్ తన ఒళ్ళో బావ కాలు పెట్టుకుని కాపడం పెడుతూ ఆ డప్పులు విన్నాడు.

మర్నాడు అక్క, వాళ్ళత్తగారు వచ్చారు. అమ్మ ముఖంలో నెత్తురు లేదు. అక్క నన్ను చూసి పెదవి కొరుక్కుంది, దాని కళ్ళల్లో నీళ్ళు ఉన్నాయో నవ్వు ఉందో నాకు తెలియలేదు. అత్తగారు కొడుకు కాలిని ఇటూ అటూ తిప్పి చూసింది, కాపడం పెడుతున్న నన్ను చూసింది. "మావోడేటి, మీవోడేటి, బంతి కాడికెల్లినోళ్ళు తన్నుకోక కూకుని పేకాడుకుంటారేటి? నాకు కాసిని మంచినీళ్ళియ్యండి వదినా, ఎండన పడి వచ్చినాను" అంది. ఇన్నాళ్ళ మా భయం అక్కడితో తేలిపోయింది. అమ్మ చెంబు తెచ్చే తొందరలో సగం నీళ్ళు దారిలోనే ఒలకబోసింది. అక్కను కాలు తగ్గేదాకా ఉండమని వదిలేసి ఆవిడ సాయంత్రం బస్సుకు వెళ్ళిపోయింది. ఆ కాలు తగ్గడానికి బావ చాలా రోజులే తీసుకున్నాడు. అక్క చుట్టుపక్కల ఉంటే ఎక్కువ కుంటేవాడు.

ఒకరోజు కాపడం పెడుతూ నేను నా ఆట గురించి చెప్పుకుంటున్నాను. బావ కాసేపు విని, "ఒరే, నిజం సెప్పీమంటావేటి?" అన్నాడు. చెప్పమన్నాను. "నువ్వు కాళ్ళట్టుకున్నావు. నా నోటమ్మట 'గెలుపు నీదే' అని వచ్చీసింది. దీవించీసి, మళ్ళీ నేనే నిన్ను ఓడగొడితే నా మాటకేటి ఇలువుంటాది? బంతి అట్టుకున్నపుడల్లా అదే మాట అడ్డొచ్చీసినాదిరా" అన్నాడు. నేను నవ్వాను. ఓడినవాళ్ళు చెప్పే మాటలు నాకు తెలియవా? "మరి ఆకర్న నా మీదకి అలా ఎందుకొచ్చినావు?" అని అడిగాను. "మావోళ్ళు సూస్తన్నారు కదా, రాకపోతే బాగోదు" అన్నాడు. చేతిలో ఉప్పుమూట చల్లారిపోయింది. లోపలికెళ్ళి వేడి చేయించుకొచ్చాను గానీ, ఆ పూట ఇంక షీల్డు సంగతి ఎత్తలేదు.

అప్పట్నుంచీ మేమిద్దరం కలిసినప్పుడల్లా అదే తగవు. మాకు మనవలు పుట్టారు, ఆ తగవు తెగలేదు. మొన్నామధ్య రాజాంలో వాళ్ళ మనవడి పెళ్ళికి వెళ్ళాను. బావ కుర్చీలో చేతికర్రతో కూర్చుని ఉన్నాడు. మోకాళ్ళు మొరాయిస్తున్నా వంగి దండం పెట్టబోయాను. ఆ వయసులో ఎక్కడి చురుకో, రెండు పాదాలూ గభాలున కుర్చీ కిందికి లాక్కుని, "నాను దీవించనురా నాయినా, ఒకపాలి దీవించీసి షీల్డు పోగొట్టుకున్నాను" అన్నాడు. పందిట్లో అందరూ నవ్వారు. నేను కుర్చీ కిందికి చెయ్యి పోనిచ్చి, ఆ పాదాన్ని వెతికి పట్టుకున్నాను. చీలమండ దగ్గర చిన్న బుడిపె ఇంకా ఉంది. చర్మం పలచబడిపోయింది. కాసేపటికి నా తల మీద బావ చెయ్యి పడింది, దీవెన మాత్రం నోటమ్మట రానివ్వలేదు. గెలిచింది నేనే. ఆ సంగతి అడిగినవాళ్ళకీ, అడగనివాళ్ళకీ ఇప్పటికీ చెప్తాను. కాకపోతే ఈ మధ్య ఆ మాట బావ పక్కన లేనప్పుడు చూసి చెప్తున్నాను.