పట్టపగలు లేచిన గబ్బిలాలు

2019 ఐప్పసి నెల, అంటే మా తమిళనాడులో అక్టోబరు-నవంబరు వానల కాలం. కోవిల్‌పట్టికి, విరుదునగరానికి నడుమ, పెద్దరోడ్డుకు పడమరగా ఉన్న ఒక సున్నపురాయి క్వారీలో నేను షాట్ ఫైరర్‌గా పని చేస్తున్నాను. షాట్ ఫైరర్ అంటే రాతిలో వేసిన బోర్లలో మందు కూరి పేల్చేవాడు. సర్టిఫికెట్ ఉంటేనే చేయనిచ్చే పని. మా నాన్న ఆలంగుళం వైపు క్వారీల్లో సమ్మెటతో రాయి కొట్టాడు. నేను మందుతో పేలుస్తున్నాను. మా ఇంట్లో అభివృద్ధి అంటే ఇదే.

ఈ వృత్తికి ధైర్యవంతులు పనికిరారని నా గట్టి నమ్మకం. నాలాంటి చాదస్తులే పింఛను దాకా మిగులుతారు. ఎక్స్‌ప్లోడర్ అని ఒక చిన్న పెట్టె ఉంటుంది. తీగల గుండా అది కరెంటు పంపితేనే మందు అంటుకుంటుంది. దానికి తాళంచెవి ఒక్కటే, అది షాట్ ఫైరర్ దగ్గరే ఉండాలి. నేను దాన్ని మొలతాడుకు కట్టుకుని తిరిగేవాణ్ణి. మా ఆవిడ దాన్ని చూసి, నాకు చేయించని నగ మీరు చేయించుకున్నారా అని దెప్పేది.

క్వారీ పడమటి కొసన ఒక పాత గుహ ఉండేది. యంత్రాలు రాకముందు ఎవరో చేత్తో రాయి తవ్వుకుని వదిలేసిన బొరియ. మనిషి వంగి దూరితే లోపల గదంత చోటు. దాని కప్పు నిండా గబ్బిలాలు. పళ్లు తినే పెద్దవి కావు, గుప్పెట్లో ఇమిడే చిన్నవి, పురుగుల్ని తినేవి. పగలంతా తలకిందులుగా వేలాడి, మునిమాపువేళ పొగలా లేచి పత్తిచేల మీదికి పోయేవి. పత్తికాయ తొలిచే పురుగు రెక్కలొచ్చి ఎగిరేది రాత్రిళ్లే కాబట్టి వీటికి అక్కడ విందు. రైతు మందు కొట్టి చేయించుకునే పనిలో కొంత ఇవి ఊరికే చేసిపెట్టేవి. ఒక్కో తల్లి మామూలుగా ఏడాదికి ఒక్క పిల్లనే కంటుందట, అందుకే మంద ఒకసారి చెదిరితే మళ్లీ కూడుకోవడం కష్టం. ఇవన్నీ నాకు తర్వాత తెలిశాయి. అప్పటికి నాకు తెలిసింది ఒక్కటే. అవి మా సైరన్‌కు కదిలేవి కావు. విని విని అలవాటు పడిపోయాయి. పేలిన తర్వాత కొన్ని బయటికొచ్చి ఒక చుట్టు తిరిగి మళ్లీ లోపల దూరేవి. పేలకముందు పగటిపూట ఒక్కటి బయటికి రాగా నేను చూడలేదు.

ఆ రోజు పేల్చాల్సిన బెంచి, అంటే మెట్టులా నరికిన రాతి అంచు, ఆ గుహను ఆనుకునే ఉంది. పేలుడుతో గుహ కూలిపోవాలన్నదే ప్లాను. పొద్దున నేనే టార్చి పట్టుకుని లోపలికి పోయి మనుషులెవరూ లేరని చూసి వచ్చాను. గబ్బిలాల మాట ప్లానులో లేదు.

మామూలుగా మా పేలుడు మధ్యాహ్నం ఒకటిన్నరకు. చుట్టుపక్కల తెలుగువాళ్ల ఊళ్లలో దాన్ని వేటు అంటారు. వేటు పడితేనే కూలీలు సద్దికి కూర్చునేవాళ్లు, గొర్రెలవాళ్లు మందను మళ్లించేవాళ్లు. గడియారం చూసేవాళ్లు తక్కువ. కానీ ఆ రోజు పదకొండు దాటగానే కడంబూరు దిక్కున మబ్బు లేచింది. ఐప్పసి మబ్బంటే పిడుగుల మబ్బు. మేం అప్పుడు ఎలక్ట్రిక్ డిటొనేటర్లు వాడేవాళ్లం. మందును రగిలించే చిన్న గొట్టాలవి. పిడుగు ఎక్కడో పడ్డా ఆ కరెంటుకు అవి తమంతట తామే పేలిపోవచ్చు. అప్పటికే బోర్లన్నీ కూరేశాం. కూరిన మందును బయటికి తీయడం పేల్చడంకన్నా ప్రమాదం. మా మేనేజర్ తూత్తుకుడి మనిషి, జాగ్రత్తపరుడు. పిడుగులు దగ్గరికి రాకముందే, పన్నెండుకే పేల్చేద్దామన్నారు. ఆయన స్థానంలో నేనున్నా అదే చెప్పేవాణ్ణి.

ఎర్రజెండాలు పట్టుకుని మనుషులు దారుల్లో నిలబడ్డారు. సైరన్ మోగింది. నేనూ, కూలీలను నడిపించే మా మేట్ పేరుమాళ్లు మామా ఇనుప షెల్టర్‌లోకి చేరాం. తాళంచెవి పెట్టె లోపల పెట్టాను. తిప్పబోయే ముందు చివరిసారి తల బయటికి పెట్టి చూడడం నా అలవాటు. చూశాను. గుహ వైపు ముళ్లపొదల మీద నల్లగా ఏదో ముసురుకుంటోంది.

"మామా, అవేంది?"

"గబ్బిలాయిలే. మబ్బుకు లేసుంటాయి. నువ్వు కానీ."

కాకులు అప్పుడే వాటి మీద పడ్డాయి. ఒక గద్ద ఒకదాన్ని తన్నుకుపోయింది. పగలు బయటికొస్తే వాటికి చావేనని వాటికి తెలియదా?

"మబ్బుకు లేవవు మామా. లోపల ఎవురో లేపినారు."

నేను తాళంచెవి పీకి, తీగల కొసలు రెండూ కలిపి మెలేశాను. అలా మెలేస్తే ఆ కొసల గుండా కరెంటు పోదు. వాకీటాకీలో మేనేజర్‌ను పిలిచాను. ఆయన అరవంలో అరిచిందాన్ని తెలుగులో చెబుతున్నాను.

"ఎందుకు ఆపావు?"

"గుహలో మనిషున్నాడు సార్."

"చూశావా?"

"లేదు. గబ్బిలాలు బయటికొచ్చాయి."

ఆయన గొంతు తగ్గింది. "మెరుపులు దగ్గరికొస్తున్నాయి. రూలు ప్రకారం అందరూ వెనక్కి రావాలి. కూరిన బెంచి పక్కకు నిన్ను పంపే అధికారం నాకు లేదు."

"మీరు పంపొద్దు సార్. నేను పోతున్నాను."

తాళంచెవిని మొలతాడుకు కట్టుకున్నాను. అది నా ఒంటిమీద ఉన్నంతసేపు మనుషులెవరూ నన్ను పేల్చలేరు. పిడుగు సంగతి వేరు. బెంచి మీద ఒక్కో బోరు నోట్లోంచి ఎర్రగా, పచ్చగా తీగలు వేలాడుతున్నాయి. వాటి పక్కనుంచే పోవాలి, వేరే దారి లేదు. ఒక మెరుపు మెరిసింది. ఉరుము వచ్చేదాకా ఊపిరి బిగబట్టి, వచ్చాక మళ్లీ పరుగెత్తాను. ప్రతిసారీ మెరుపుకూ ఉరుముకూ నడుమ ఎడం తగ్గుతూ వచ్చింది.

ముళ్లపొద వెనక ఒక మోపెడ్ వాల్చి ఉంది. ఎవడో జెండాలు పెట్టకముందే చెరువు వైపు కాలిదారిన వచ్చినట్టున్నాడు.

"ఎవురురా లోపల? వేటు పెట్టుండాము! బయటికి దా!"

లోపల రెక్కల చప్పుడు, కళ్లు మండించే వాసన. టార్చి వెలుగులో ఒక మనిషి, చేతిలో ముళ్లకొమ్మ, చంకలో గోనెసంచి. గుర్తుపట్టాను. పక్క ఊరి సీనిచామి, ట్రాక్టరు తోలేవాడు.

"వేటు ఒకటిన్నరకి గదన్నా? ఇంకా పొద్దుండాదే!"

"మబ్బుకని ముందే పెట్టినాము. సైరన్ వినపళ్ళేదా?"

"ఈటి గోలలో ఏమి వినపడతాది? ఒక్కటే చిక్కిందన్నా. ఇంకో రెండు..."

చేయి పట్టి లాగాను. గుంజుకున్నాడు. వాడి కళ్లలో నీళ్లు తిరిగాయి, అది వాసనకు మాత్రమే కాదు.

"పిల్లకి ఇళైప్పన్నా. రాత్రంతా మూచ్చు అందలేదు. గబ్బిలాయి కూర పెడితే నిలుస్తాదని అందురూ చెప్తుండారు. నేను ఒట్టిచేతల్తో ఇంటికి పోలేను."

మా పక్క ఇళైప్పుకు, అంటే ఉబ్బసానికి, గబ్బిలం మాంసం మందన్న మాట తరతరాలుగా ఉంది. అది తప్పని వాడితో వాదించే చోటా అది!

"నువ్వు ఈడనే పడిపోతే ఆ పిల్లకి ఎవురు పెట్టేది? సీక్రం దా!" అని చొక్కా పట్టుకుని ఈడ్చాను. ఇంకెవరైనా ఉన్నారేమోనని టార్చి మూలమూలకూ తిప్పి చూసి, వాణ్ణి ముందు తోసుకుంటూ ఆ తీగల పక్కనుంచే పరుగెత్తించాను. సంచి మాత్రం వాడు వదల్లేదు.

షెల్టర్‌లో పడ్డాక తీగల మెలి విప్పడం మొదలుపెట్టాను. పేరుమాళ్లు మామ నా వీపు మీద చేయి వేసి, "మెల్లగా, మెల్లగా" అన్నాడు. మళ్లీ సైరన్. మళ్లీ తల బయటికి పెట్టి చూశాను. తాళంచెవి తిప్పి నొక్కాను.

భూమి అదిరింది. దుమ్ము అణగడానికి వాన సాయం చేసింది. గుహ ఉన్నచోట రాళ్లకుప్ప. దాని పైన గబ్బిలాలు వానలో తిరుగుతూనే ఉన్నాయి. వాకిలి ఉండే చోటికి దిగడం, మళ్లీ లేవడం. సీనిచామి చాలాసేపు చూశాడు. తాను ఎక్కడ నిలబడి ఉండేవాడో అప్పుడు తెలిసొచ్చినట్టుంది, చతికిలబడ్డాడు. ఒళ్లో సంచి కదులుతోంది.

"అన్నా," అన్నాడు, "దీన్ని ఇప్పుడు ఇడిస్తే యాడికి పోతాది?"

చంపి కూర వండుదామని పట్టినవాడే దానికి ఇల్లు వెతుకుతున్నాడు. వాడు వాటిని లేపకపోయి ఉంటే, నేను ఆ మందనంతా కప్పు కింద పాతేసి ఇంటికి పోయి అన్నం తినేవాణ్ణి. అవి లేవకపోయి ఉంటే వాణ్ణి పాతేసేవాణ్ణి. ఒకరినొకరు కాపాడుకోవాలని ఎవరూ అనుకోలేదు.

మేనేజర్ వాణ్ణి పోలీసులకు పట్టిస్తారనుకున్నాను. ఆయన జీపిచ్చి పిల్లను కోవిల్‌పట్టి ఆస్పత్రికి పంపించారు. అక్కడి డాక్టరమ్మ సీనిచామిని చెడామడా తిట్టి, పీల్చే మందు రాసిచ్చి, అడవి జంతువు మాంసం పెడితే లేని జబ్బులు తెచ్చుకుంటావని చెప్పింది. సంచిలోని గబ్బిలాన్ని వాడు ఆ సాయంత్రమే తన చేనిలోని ఎండిన బావిలో వదిలాడు. మిగతావి ఎక్కడికి పోయాయో కొన్నాళ్లు ఎవరికీ తెలియలేదు. తర్వాత ఒక్కొక్కటిగా అదే బావి గోడల సందుల్లో చేరాయి. అవే ఇవో, వేరేవో, నేను ప్రమాణం చేసి చెప్పలేను.

ఆ రోజు నాకు నేర్పింది నా పనికి సంబంధించిన చిన్న విషయం. సైరన్ మోగించినంత మాత్రాన అందరికీ చెప్పినట్టు కాదు. ఊరు మా వేటును నమ్ముకుని బతుకుతోంది కనుక, వేళ మారితే ముందు ఊరికి తెలియాలి. ఇప్పుడు వేళ ముందుకు జరిగితే మైకు కట్టిన ఆటో ఊరూరా తిరగందే నేను తాళంచెవి బయటికి తీయను. పేల్చబోయే చోట ఏముంటుందో, ఏ గూడుందో, ప్లాను గీసేటప్పుడే అడుగుతాను. నా చాదస్తం ముదిరిందంటారు, అననీ.

పేల్చే రోజున మొదటి ఫోను సీనిచామికే. వాడు ప్రతిసారీ ఒకటే అడుగుతాడు. "మాపటేళ పెట్టొద్దన్నా. అవి బావిలోంచి బయటికొచ్చే పొద్దు అది." చీకటి పడే వేళకు పేల్చడానికి మాకు అనుమతే లేదని ఎన్నిసార్లు చెప్పినా మళ్లీ అడుగుతాడు. నేనూ విసుక్కోకుండా మళ్లీ చెబుతాను.