పద్నాలుగో కుంతిలనక్

జకార్తాలో దయ్యాల సినిమా అంటే జనం ముందుగా చెప్పుకునేది మర్తోనో పేరే. మనిషిని చూస్తే మాత్రం అలా ఉండడు. బక్కగా, వేళ్ల మధ్య లవంగాల సిగరెట్టు ఆరిపోయినా తెలీకుండా, పెళ్లిళ్లలో వంటలు చేసే మేస్త్రీలా ఉంటాడు. పదమూడు సినిమాలు తీశాడు. పదమూడింట్లోనూ దయ్యం ఒకటే, కుంతిలనక్. కాన్పులో చచ్చిపోయి, జుట్టు విరబోసుకుని బిడ్డ కోసం తిరిగే ఆడది.

ఆయన భార్య ముర్నియాతి పోయిందీ కాన్పులోనే. అప్పట్లో ఊరూరా తెర కట్టి సినిమాలు ఆడించేవాడు. ఆవిడకి నొప్పులొచ్చిన రోజు బోగోర్ అవతలెక్కడో గుంజలు పాతుతున్నాడు. కబురంది ఇంటికొచ్చేసరికి మట్టి చేసేశారు. బిడ్డ బతికింది. అదే రెట్నో.

"పెళ్లాన్ని టిక్కెట్టు పెట్టి అమ్ముకుంటున్నాడు" అని జనం వెనకాల అనేవాళ్లు. మేకప్ వేసే జుమిలా అయితే మొహం మీదే అనేది.

"అన్నా, ఆ మహాతల్లిని ఇంకెన్నిసార్లు చంపుతావు?"

"నేను చంపట్లేదే. తిరిగొచ్చేలా చేస్తున్నా."

"వచ్చాక తరిమేస్తున్నావుగా! అది మరిచిపోయావా?"

నిజమే. ఆఖర్న తెల్లబట్టల కియాయి గారు, అంటే మతగురువు, తస్బీ జపమాల పట్టుకుని రావాలి, దువా చదవాలి, దయ్యం కేకలేస్తూ పోవాలి. అది లేకపోతే సెన్సారు వాళ్లు కాయితం ఇవ్వరు.

రెట్నో అమ్మమ్మ దగ్గర పెరిగింది. ఇరవయ్యొకటో ఏడు వచ్చినా తండ్రి సినిమా ఒక్కటీ చూడలేదు. ఎందుకని ఓ రోజు అడిగాడు.

"చూడక్కర్లేదు నాన్నా, వీధంతా చెప్తుంది. ఆఖర్న అమ్మని గెంటేస్తారు. అది చూడ్డానికి డబ్బులిచ్చి రావాలా?"

"గెంటని సినిమా తీస్తే?"

"తియ్యి చూద్దాం. ముందు వరసలో కూర్చుంటా."

అలా మొదలైంది పద్నాలుగోది. అందులో కుంతిలనక్ ఇంటికొస్తుంది. వసారాలో టీ తాగుతున్న కియాయి గారు ఆవిణ్ని చూసి, గ్లాసు కింద పెట్టి, చెప్పులేసుకుని తన దారిన పోతాడు. దయ్యం కూతుర్ని కూర్చోబెట్టుకుని తల దువ్వుతుంది. అంతే. ఆ సీను తీసిన పూట జుమిలా సవరం సర్దే వంకతో గోడవైపు తిరిగి ముక్కు చీదుకుంది.

సెన్సారు ఆఫీసరు మంచి మర్యాదస్తుడు. కాఫీ ఇప్పించాడు.

"బాగుందండీ మర్తోనో గారూ. మా ఆవిడైతే ఏడ్చేస్తుంది. కానీ దయ్యం ఇంట్లోనే ఉండిపోతే ఎలా?"

"తల్లండీ ఆవిడ."

"చచ్చిపోయిన తల్లి. పంపించెయ్యండి."

మూడు వారాలు ఆ మెట్లెక్కి దిగాడు. లెబరాన్, అదే రంజాన్ పండక్కి హాళ్లు మాట్లాడేసి ఉన్నాయి, పోస్టర్లు అంటించేశారు. ఆఖరికి ఆఫీసరు అడిగిన ముగింపు ఒక్క పూటలో తీసేశారు. పాత కియాయి వేషగాడే, పాత దువాయే. కూతురి తల దువ్వే చెయ్యి గడప మీద గోళ్లతో గీసుకుంటూ బయటికి పోయింది.

రెట్నోకి చెప్పాలనే ప్రతి పొద్దున్నా వాళ్లింటికి వెళ్లాడు. దగ్గు తగ్గిందా, కిరసనాయిలు దొరుకుతోందా అనడిగి వచ్చేసేవాడు.

మొదటి ఆటకి సెనెన్ హాలుకి వచ్చింది. ముందు వరసలోనే కూర్చుంది. మర్తోనో వెనక తలుపు దగ్గర నిలబడి, తెర వదిలేసి కూతురి తలనే చూస్తున్నాడు. కుంతిలనక్ ఇంటికొచ్చినప్పుడు ఆ తల పైకి లేచింది. వసారాలో తెల్లబట్టలు కదిలాయి, జనం ఈలలేశారు. రెట్నో తల వంచేసుకుంది. దీపాలు వెలిగేదాకా ఎత్తలేదు.

బయట ఎదురెళ్లాడు.

"నేను తీసింది అది కాదమ్మా. సెన్సారు వాళ్లు..."

"ముందే చెప్పొచ్చుగా."

"చెప్తే రావని..."

"వచ్చేదాన్ని కాదు. కనీసం నువ్వు అమ్మని గెంటకుండా తీశావనే అనుకుంటూ ఇంట్లో కూర్చునేదాన్ని."

రిక్షా పిలిచి ఎక్కేసింది. తండ్రిని ఎక్కమనలేదు.

పండక్కి ఆ సినిమా విరగాడింది. హాళ్లవాళ్లు ఇంకోటి తియ్యమని ఇంటిమీద పడ్డారు. తీశాడు. పదిహేనోదానికి కియాయి గారు దయ్యాన్ని తరిమే సీను మొదటిరోజునే తీయించేశాడు. రెట్నోకి కబురు పంపలేదు.